ఫుల్ డే టూర్ బుక్ చేసే ముందు: సముద్ర తీరంలో తీసుకోవాల్సిన జాగ్రత్తలు

ఉష్ణమండల తీరాలకు సెలవులు గడపడానికి వెళ్లినవాళ్లలో చాలామంది ఒక్క రోజైనా గైడ్‌తో ఫుల్ డే టూర్‌కి వెళ్తారు. పొద్దున్నే బోటెక్కి రెండు మూడు దీవులు చూసి, పగడపు దిబ్బల దగ్గర స్నార్కెలింగ్ (మాస్కు పెట్టుకుని, గొట్టంతో ఊపిరి తీస్తూ నీటి పైభాగంలో ఈదడం) చేసి, పొద్దుగూకేలోపు ఒడ్డుకు చేరతారు. బ్రోషర్లు చూసి వీటిలో మంచి టూర్ ఏదో తేల్చుకోలేం. అన్నిటిలోనూ అవే నీలి నీళ్లు, అదే తెల్లటి ఇసుక. నా మటుకు ముందు చూడాల్సినవి రెండే. సముద్రం బాగోలేనప్పుడు ‘ఈ రోజు బోటు తీయం’ అని చెప్పే ఆపరేటరేనా? ఆ మాట విన్నప్పుడు టెన్షన్ పడకుండా టూర్‌ని ఇంకో రోజుకి జరుపుకునే వీలు మనకుందా? ఈ రెండూ కుదిరాకే ఎన్ని దీవులు, ఏం భోజనం అన్న ప్రశ్నలు.

ఇంత గట్టిగా చెప్పడానికి కారణం ఉంది. 2018 జులై 5న థాయిలాండ్‌లోని ఫుకెట్ దగ్గర ఒక టూరిస్టు బోటు తుపాను గాలికి మునిగి 47 మంది చనిపోయారు. సముద్రం ఉధృతంగా ఉంటుందన్న హెచ్చరిక అప్పటికే ఉంది. డబ్బు కట్టేశాం, సెలవులు అయిపోతున్నాయి, అందరూ ఎక్కుతున్నారు అనుకుంటూ బోటెక్కే రోజులే ప్రమాదకరం. ఆ ఒత్తిడి బుకింగ్ దశలోనే లేకుండా చూసుకోవాలి.

అందుకే టూర్‌ని ట్రిప్‌లో చివరి రోజున పెట్టుకోకండి. దిగిన మర్నాడో, ఆ పైరోజో పెట్టుకుంటే గాలి వల్ల రద్దయినా చేతిలో ఇంకో రెండు రోజులు ఉంటాయి. స్కూబా (వీపుకు గాలి సిలిండర్ కట్టుకుని నీటి లోపలికి దిగే డైవింగ్) కూడా ఉంటే ఇది తప్పనిసరి. డైవింగ్ చేశాక శరీరంలో మిగిలిన నైట్రోజన్ బయటికి పోవడానికి టైమ్ కావాలి. డైవర్ల భద్రత సంస్థ డాన్ సిఫారసు ప్రకారం డీకంప్రెషన్ (పైకి వచ్చేటప్పుడు మధ్యలో ఆగి ఒత్తిడి తగ్గించుకోవడం) అవసరం లేని ఒక్క డైవ్ చేస్తే కనీసం 12 గంటలు, వరసగా కొన్ని డైవ్‌లు చేస్తే కనీసం 18 గంటలు విమానం ఎక్కకూడదు. సాయంత్రం డైవ్ చేసి తెల్లవారుజామున ఫ్లైట్ పట్టుకుంటానంటే కుదరదు.

సీజన్, గాలి, అలలు

ఒకే దేశంలో రెండు తీరాలకు రెండు సీజన్లు ఉండొచ్చు. థాయిలాండ్‌లో ఫుకెట్, క్రాబీ ఉన్న అండమాన్ సముద్రం వైపు మే నుంచి అక్టోబర్ దాకా అలలు పెద్దవిగా ఉంటాయి. అటువైపు కో సముయి దీవి ఉన్న గల్ఫ్ ఆఫ్ థాయిలాండ్‌లో జోరు వానలు, గాలులు అక్టోబర్ నుంచి డిసెంబర్ మధ్య వస్తాయి. కరేబియన్‌లో హరికేన్ సీజన్ జూన్ 1 నుంచి నవంబర్ 30 దాకా. ఫిజీ ఉన్న దక్షిణ పసిఫిక్‌లో తుపాన్ల కాలం నవంబర్ నుంచి ఏప్రిల్ దాకా. ఉత్తర ఆస్ట్రేలియా తీరంలో సుమారు నవంబర్ నుంచి మే వరకు ప్రాణం తీయగల బాక్స్ జెల్లీఫిష్ ఉంటాయి. ఆ నెలల్లో ఒళ్లంతా కప్పే స్టింగర్ సూట్ ఇచ్చే టూర్ అయితేనే నీళ్లలో దిగండి. ఆఫ్ సీజన్‌లో టూర్లు చవగ్గా దొరుకుతాయి కాబట్టి వెళ్లొద్దని అనను. ఆ నెలల్లో వెళ్తే మాత్రం టూర్ రద్దయ్యే అవకాశం సగానికి సగం ఉందనుకుని ప్లాన్ చేసుకోండి.

ఫోన్‌లోని వాతావరణం యాప్ మబ్బు బొమ్మ చూపించినంత మాత్రాన కంగారు పడక్కర్లేదు, ఎండ బొమ్మ చూపిస్తే నిశ్చింతగానూ ఉండకూడదు. బోటుకి వాన పెద్ద సమస్య కాదు, గాలీ అలలే సమస్య. ఎక్కడో దూరాన తుపాను ఉంటే ఇక్కడ ఎండ కాస్తుండగానే పెద్ద కెరటాలు వస్తాయి. ఆ దేశపు వాతావరణ శాఖ జాలర్లకు, చిన్న బోట్లకు ఇచ్చే సముద్ర సూచన చూడండి. అందులో అలల ఎత్తు మీటర్లలో ఉంటుంది. రెండు మీటర్లు అని ఉంటే చిన్న స్పీడ్‌బోటులో చిన్నపిల్లలతో, వయసు మళ్లినవాళ్లతో వెళ్లడం మానుకోవడమే మంచిది. ‘చిన్న బోట్లు ఒడ్డునే ఉండాలి’ అని హెచ్చరిక ఉన్న రోజున ఎవరు ఎంత బతిమాలినా ఎక్కొద్దు.

మామూలు రోజుల్లోనూ తీరాల్లో చాలాచోట్ల పొద్దున సముద్రం నిమ్మళంగా ఉంటుంది. ఎండ ఎక్కే కొద్దీ సముద్రపు గాలి లేస్తుంది, మధ్యాహ్నం ఉరుములు, మెరుపులు మొదలవుతాయి. అంటే వెళ్లేటప్పుడు హాయిగా ఉన్న దారే అందరూ అలిసిపోయి తిరిగొచ్చేటప్పుడు కుదుపుతుంది. పైగా ఉష్ణమండలంలో సంధ్య వెలుగు ఎంతోసేపు నిలవదు, సూర్యుడు దిగాడంటే కాసేపట్లోనే చీకటి పడుతుంది. పొద్దున 7కి బయల్దేరి 3 గంటలకల్లా ఒడ్డుకు చేర్చే టూర్, 10కి బయల్దేరి సూర్యాస్తమయం చూపించి తెచ్చే టూర్ రెండూ ఉంటే నేను మొదటిదే తీసుకోమంటాను.

కాగితం మీది గంటలు

‘ఐదు దీవులు, ఒక్క రోజు’ అన్న ప్రకటన కనిపిస్తే కూర్చుని లెక్క వేయండి. పొద్దున 8కి పికప్, సాయంత్రం 5కి దింపడం అనుకుందాం. మొత్తం 9 గంటలు. హోటల్ హోటల్‌కీ తిరిగి అందరినీ ఎక్కించుకునే వ్యాన్‌లో గంట, సాయంత్రం మళ్లీ గంట. జెట్టీలో (బోటెక్కే రేవు) పేర్లు రాసుకుని మాస్కులు, ఫిన్స్ (ఈతకు కాళ్లకు తొడిగేవి) పంచడానికి అరగంట. భోజనానికి గంట. మిగిలింది ఐదున్నర. బోటులో మొత్తం ప్రయాణం రెండున్నర గంటలు వేసుకుంటే చేతిలో మిగిలేది 3 గంటలు. ఐదు దీవులకు పంచితే ఒక్కోచోట 36 నిమిషాలు, అందులోనే దిగడం, ఎక్కడం, వెనకబడ్డవాళ్ల కోసం చూడటం. ఇలాంటి టూర్లలో సరదా సగం తగ్గడం ఒక ఎత్తు, హడావుడి ఇంకో ఎత్తు. తడి మెట్ల మీద పరుగులు, మాస్కు సరిగ్గా బిగించుకోకుండానే నీళ్లలోకి దూకడం ఈ తొందరలోనే జరుగుతాయి. రెండు చోట్లకే తీసుకెళ్లి ఒక్కోచోట గంటన్నర ఉంచే టూర్ మేలు.

ప్రకటనలోని ఫోటో ఇప్పటి పరిస్థితేనా అని కూడా అడగండి. థాయిలాండ్‌లోని మాయా బే అనే దీవి బీచ్ దీనికి మంచి ఉదాహరణ. పగడాలు బాగా దెబ్బతినడంతో 2018 జూన్‌లో మూసేసి 2022 జనవరిలో మళ్లీ తెరిచారు. ఇప్పుడు బోట్లు బీచ్ ముందుకు రావు, దీవి వెనక వైపు నుంచి నడిచి వెళ్లాలి. అక్కడ ఈతకు అనుమతి లేదు. ఏటా కొన్ని వారాలు మళ్లీ మూస్తారు కూడా.

బుక్ చేసే ముందు ఇంకో ప్రశ్న అడగమంటాను. ‘ఈ టూర్ మొత్తంలో అన్నిటికన్నా కష్టమైన భాగం ఏది?’ అని. అనుభవం ఉన్న ఆపరేటర్ తడుముకోకుండా చెబుతాడు: ఫలానా చోట నడుము లోతు నీళ్లలో దిగాలి, ఫలానా చోట రాళ్ల మీద ఇరవై నిమిషాలు ఎక్కాలి అని. ‘ఏం కష్టం లేదు, ఎవరైనా రావచ్చు’ అనేవాళ్లను నమ్మకండి. థాయిలాండ్‌లోనే కో ముక్ దీవిలో మొరకోట్ గుహ ఉంది. కొండ మధ్యలో దాగిన చిన్న బీచ్‌కి చేరాలంటే సుమారు 80 మీటర్ల సొరంగంలో ఈదుకుంటూ వెళ్లాలి, మధ్యలో కటిక చీకటి. లైఫ్‌జాకెట్ వేసుకుని గైడ్ వెనకే వెళ్తారు, అదీ నీటిమట్టం తగ్గినప్పుడే. బ్రోషర్‌లో మాత్రం లోపలి పచ్చటి నీళ్లే కనిపిస్తాయి. నీళ్లంటే భయం ఉన్న మనిషికి ఆ చీకట్లో ఊపిరాడనట్టు అనిపిస్తే ఆగడానికి చోటుండదు. ఆ విషయం సొరంగం ముందుకెళ్లాక కాదు, డబ్బు కట్టకముందే తెలియాలి. పౌర్ణమి, అమావాస్య రోజుల్లో ఆటుపోట్ల తేడా ఎక్కువగా ఉంటుంది కాబట్టి గుహలున్న టూర్‌కి ఆ తేదీలు కూడా చూసుకోవాలి.

మీ గుంపులో ఎవరున్నారు

గుంపులో ఈత బాగా వచ్చినవాళ్లను కాదు, అసలు రానివాళ్లను బట్టి టూర్ ఎంచుకోండి. గర్భిణులు, నడుం నొప్పి ఉన్నవాళ్లు, వెన్నెముకకు ఆపరేషన్ అయినవాళ్లు స్పీడ్‌బోటు ఎక్కకూడదు. బోటు అలల మీద ఎగిరి పడుతుంటే ముందు సీట్లలో కూర్చున్నవాళ్లకు వెన్నుపూస చిట్లిన సందర్భాలు ఉన్నాయి. ఆరోగ్యంగా ఉన్నవాళ్లయినా మధ్యలోనో వెనకో కూర్చోవడం మంచిది, కుదుపు తక్కువ. వాంతులయ్యే అలవాటుంటే మాత్ర బయల్దేరడానికి గంట ముందే వేసుకోవాలి, వికారం మొదలయ్యాక వేసుకుంటే పెద్దగా పనిచేయదు. ఏ మాత్రో, పిల్లలకు ఎంతో డాక్టర్‌ని అడిగి తెచ్చుకోండి, కొన్నిటితో బాగా నిద్ర వస్తుంది.

గుండె జబ్బు ఉన్నవాళ్లకు స్నార్కెలింగ్ తేలికపాటి ఆట కాదు. ప్రవాహంలో ఈదడం, కొత్త పద్ధతిలో ఊపిరి తీయడం, కంగారు అన్నీ కలిసి గుండె మీద భారం వేస్తాయి. స్నార్కెలింగ్‌లో మునిగిపోతున్న మనిషి చాలాసార్లు కేకలు వేయడు, చేతులు కొట్టుకోడు. మొహం నీళ్లలో పెట్టి చేపల్ని చూస్తున్నట్టే ఉంటాడు. అందుకే ఇద్దరిద్దరుగా దిగండి, నిమిషానికోసారి పక్కవాళ్లను పలకరించండి. మాస్కు, గొట్టం ముందు రోజే నడుము లోతు నీళ్లలో అలవాటు చేసుకోండి. ఈత రాకపోతే లైఫ్‌జాకెట్ ఒంటి మీదే ఉండాలి. ఎంత మంచి గైడ్ అయినా పాతికమందిని ఒక్కడే చూసుకోలేడు కాబట్టి నీళ్లలో మనతో ఎంతమంది గైడ్లు దిగుతారో అడగండి.

స్కూబా ముందు ఇచ్చే మెడికల్ ఫారంలో ఆస్తమా, గుండె, చెవి, సైనస్ గురించి ఉన్నది ఉన్నట్టు రాయండి. ‘అన్నిటికీ లేదు అని టిక్ పెట్టేయండి’ అని తొందరపెట్టే చోట డైవ్ చేయొద్దు. జలుబుతో ముక్కు బిగుసుకున్న రోజు కూడా వద్దు, చెవుల్లో ఒత్తిడి సరిచేసుకోలేక కర్ణభేరికి దెబ్బ తగులుతుంది.

జెట్టీలో

బోటెక్కే ముందు పది నిమిషాలు కళ్లు తెరిచి చూస్తే చాలా తెలుస్తుంది. లైఫ్‌జాకెట్లు సీట్ల కింద కట్టలు కట్టి ఉన్నాయా, చేతికి అందేలా ఉన్నాయా? మీది తీసుకుని వేసుకోండి. క్లిప్పులన్నీ పడుతున్నాయో లేదో చూసి, రెండు భుజాల దగ్గర పట్టుకుని పైకి లాగండి. జాకెట్ గడ్డం దాటి చెవుల దాకా వచ్చిందంటే నీళ్లలో పైకి జారిపోతుంది, చిన్న సైజు అడగండి. పిల్లలకు పిల్లల సైజే కావాలి, పెద్దవాళ్ల జాకెట్ బెల్టు బిగించి సరిపెడతామంటే ఒప్పుకోకండి. ఎక్కే జనం బోటుకు రాసి ఉన్న సంఖ్య కన్నా ఎక్కువగా ఉంటే దిగిపోండి. సిబ్బంది దగ్గర రేడియో, ఫస్ట్ ఎయిడ్ పెట్టె ఉన్నాయా, బయల్దేరే ముందు భద్రత గురించి నాలుగు ముక్కలు చెప్పారా చూడండి. బోటు నడిపే మనిషి దగ్గర మద్యం వాసన వస్తే ఇక ఆలోచించాల్సిన పనే లేదు.

తలల లెక్క అన్నిటికన్నా ముఖ్యం. 1998 జనవరిలో ఆస్ట్రేలియాలోని గ్రేట్ బ్యారియర్ రీఫ్ అనే పగడపు దిబ్బల దగ్గర డైవింగ్‌కి వెళ్లిన ఒక అమెరికన్ జంటను లెక్క తప్పి సముద్రంలోనే వదిలేసి బోటు వెనక్కి వచ్చేసింది. వాళ్ల బ్యాగు బోటులోనే ఉందని గమనించడానికి రెండు రోజులు పట్టింది. వాళ్లు మళ్లీ దొరకలేదు. ప్రతి మజిలీ దగ్గరా గైడ్ పేర్లు పిలిచి లెక్క పెడుతున్నాడో లేదో చూడండి, మీ వాళ్లను మీరూ లెక్కపెట్టుకోండి. పక్క సీటు ఖాళీగా ఉంటే మొహమాటపడకుండా అడగండి.

నీళ్లలోంచి బోటెక్కేటప్పుడు ఇంజిన్ పూర్తిగా ఆగాకే నిచ్చెన దగ్గరికి రావాలి. ప్రొపెల్లర్ తిరుగుతున్నా నీళ్లలోంచి కనిపించదు.

ఒంటిమీదికి ఏం కావాలి

స్నార్కెలింగ్‌లో వీపు, మెడ వెనక, పిక్కలు ఎండకి కాలిపోతాయి, నీళ్ల చల్లదనంలో తెలియదు. పొడుగు చేతుల స్విమ్ షర్ట్ వేసుకుంటే సన్‌స్క్రీన్ క్రీమ్ మీద ఆధారపడే పని సగం తగ్గుతుంది. క్రీమ్ రెండు గంటలకోసారి, నీళ్లలోంచి వచ్చిన ప్రతిసారీ రాసుకోవాలి. హవాయి, పసిఫిక్ దీవుల దేశం పలావు లాంటి చోట్ల పగడాలకు హాని చేసే ఆక్సీబెంజోన్, ఆక్టినాక్సేట్ ఉన్న క్రీములు అమ్మడాన్ని నిషేధించారు కాబట్టి కొనేముందు డబ్బా మీద చదవండి. నీళ్లు మనిషికి రెండు లీటర్లన్నా ఉండాలి, ఓఆర్‌ఎస్ ప్యాకెట్లు రెండు వేసుకోండి. మద్యం తిరిగొచ్చాకే.

ఉరుము వినిపిస్తే వెంటనే నీళ్లలోంచి బయటికి రండి. చివరి ఉరుము తర్వాత అరగంట దాకా మళ్లీ దిగొద్దు. టూర్‌లో జలపాతం ఉంటే ఇంకో జాగ్రత్త: పైన కొండల్లో వాన పడితే ఇక్కడ ఎండగా ఉన్నా వరద వస్తుంది. నీళ్ల రంగు మారి బురదగా కనిపించినా, ఆకులు, పుల్లలు కొట్టుకొస్తున్నా సామాన్లు వదిలేసి గట్టు ఎక్కండి.

డబ్బు, ఇన్సూరెన్స్

వాతావరణం వల్ల ఆపరేటర్ రద్దు చేస్తే మొత్తం డబ్బు వెనక్కి ఇస్తారా, ఇంకో తేదీ ఇస్తారా అన్నది రాతలో తీసుకోండి, వాట్సాప్ మెసేజ్ అయినా సరే. ‘మీ అంతట మీరు ఎక్కకపోతే రీఫండ్ లేదు’ అన్న షరతు చాలాచోట్ల ఉంటుంది. ఆ మొత్తాన్ని పోయినా బాధపడని స్థాయిలోనే ఉంచుకుంటే, జెట్టీలో బోటు చూసి మనసు ఒప్పనప్పుడు వెనుదిరగడం తేలికవుతుంది. బీచ్‌లో దొరికే ఏజెంట్ దగ్గర కొంటే బోటు నడిపే అసలు కంపెనీ పేరు, లైసెన్స్ వివరాలు అడిగి రాసుకోండి. నేషనల్ పార్కు రుసుము టికెట్‌లో కలిసిందో లేదో కూడా అప్పుడే అడగాలి. ట్రావెల్ ఇన్సూరెన్స్‌లో స్కూబా, స్పీడ్‌బోటు, దీవి నుంచి ఆస్పత్రికి తరలింపు ఉన్నాయో లేదో పాలసీ చదివి చూడండి. డైవింగ్‌కి ఫలానా లోతు దాకానే అని పరిమితి పెట్టే పాలసీలూ ఉన్నాయి.

బయల్దేరే ముందు కంపెనీ పేరు, జెట్టీ పేరు, తిరిగొచ్చే సమయం హోటల్ రిసెప్షన్‌లోనూ, ఇంట్లోవాళ్లకూ చెప్పి వెళ్లండి. ఆ సమయం దాటి రెండు గంటలైనా మీ నుంచి కబురు లేకపోతే ఎవరికి ఫోన్ చేయాలో ఆ నంబర్ కూడా వాళ్ల దగ్గర పెట్టండి.