గోవా చిత్రోత్సవానికి బెజవాడ నుంచి సిద్ధమయ్యే పద్ధతి

భారత అంతర్జాతీయ చలనచిత్రోత్సవం 55వ సారి 2024 నవంబరు 20 నుంచి 28 వరకు గోవా రాజధాని పణజిలో జరిగింది. 81 దేశాల నుంచి 180కి పైగా అంతర్జాతీయ చిత్రాలు వచ్చాయి. ఉత్సవంలో భారతీయ చిత్రాలకు కేటాయించిన పనోరమా విభాగపు చిత్రాలు వీటికి అదనం. పొద్దున్నుంచి అర్ధరాత్రి వరకు హాలు విడవకుండా కూర్చున్నా, ఆ తొమ్మిది రోజుల్లో ఒక మనిషి చూడగలిగేది అందులో నాలుగో వంతుకు మించదు. అందువల్ల ఉత్సవానికి వెళ్లేవారు ముందుగా నేర్చుకోవలసింది ఎంచుకోవడం. ఆ పని పణజి చేరాక మొదలుపెడితే కుదరదు. నెలల ముందే ఇంట్లో కూర్చుని చేయాలి. విజయవాడ, గుంటూరు ప్రేక్షకులకు ఆ పద్ధతిని 2024 ఉత్సవం ఉదాహరణగా వివరిస్తాను.

జాబితా చేతికి రాగానే మొదట చేయవలసింది కొట్టివేత. మన ఊళ్లో ఆడిన చిత్రాలను, రేపో మాపో ఆడబోయే వాటిని పక్కన పెట్టాలి. విజయవాడ గాంధీనగర్ దశాబ్దాలుగా సినిమా పంపిణీ ఆఫీసులకు నెలవు. తెలుగు చిత్రాలు గానీ, పేరున్న హాలీవుడ్ చిత్రాలు గానీ మనకు చేరకుండా పోవు. ఆ ఏడాది పనోరమాలో ఉన్న 'కల్కి 2898 ఏడీ' జూన్ నెలలోనే మన హాళ్లలో విడుదలైంది. దాన్ని చూడడానికి గోవా వెళ్లనక్కరలేదు. ప్రారంభ చిత్రంగా వేసిన 'బెటర్ మ్యాన్' వంటివి కూడా ఏదో ఒక దారిలో తర్వాత దొరుకుతాయి. కానీ లిథువేనియాలోనో రొమేనియాలోనో కొత్త దర్శకులు తీసిన చిత్రం బీసెంట్ రోడ్డు దరిదాపులకు వస్తుందని ఎదురుచూడలేము. మీ సమయాన్ని, డబ్బును అలాంటి చిత్రాల కోసమే వెచ్చించండి.

ఆ చిత్రాలలో ఏవి చూడాలో తెలియడానికి ఒక నోటుపుస్తకం చాలు. ఫిబ్రవరిలో బెర్లిన్, మేలో కాన్, ఆగస్టులో లొకార్నో, ఆగస్టు చివర మొదలయ్యే వెనిస్, సెప్టెంబరులో టొరంటో. ఈ ఐదు ఉత్సవాల ఫలితాలు వెలువడినప్పుడల్లా చిత్రం పేరు, దర్శకుడి పేరు, వచ్చిన బహుమతి రాసిపెట్టుకోవాలి. ప్రధాన బహుమతులతో ఆగిపోకుండా తొలి చిత్రాలకు, పక్క విభాగాలకు ఇచ్చేవి కూడా రాసుకోవాలి, ఎందుకంటే గోవాకు వచ్చే మంచి చిత్రాలు చాలావరకు అక్కడి నుంచే వస్తాయి. గోవా జాబితా రాగానే రెంటినీ పక్కపక్కన పెట్టి చూస్తే మీ ఎంపిక సగం పూర్తవుతుంది.

ఈ పద్ధతి ఎంతవరకు పనికొస్తుందో 2024 ఫలితాలే చెబుతాయి. పోటీ విభాగంలోని 15 చిత్రాలలో గోవా ఉత్సవపు అత్యున్నత బహుమతి అయిన స్వర్ణ మయూరం పొందిన లిథువేనియా చిత్రం 'టాక్సిక్' అంతకు ముందు ఆగస్టులోనే లొకార్నోలో ప్రధాన బహుమతి అయిన స్వర్ణ చిరుత గెలుచుకుంది. ఉత్తమ దర్శకుడి బహుమతి తెచ్చుకున్న రొమేనియా చిత్రం 'ద న్యూ ఇయర్ దట్ నెవర్ కేమ్' వెనిస్‌లో ప్రధాన పోటీకి పక్కన నడిచే ఒరిజాంటి విభాగపు ఉత్తమ చిత్రం. ప్రత్యేక జ్యూరీ బహుమతి, ఉత్తమ నటుడి బహుమతి రెండూ అందుకున్న ఫ్రెంచి చిత్రం 'హోలీ కౌ' కాన్‌లో యువ జ్యూరీ మెచ్చినది. నోటుపుస్తకం ఉన్నవారికి ఈ మూడు పేర్లూ నవంబరుకు ముందే తెలుసు. వీటికి టికెట్ల కోసం అందరికంటే ముందు ప్రయత్నించి ఉండేవారు. అలాగని మొత్తం పట్టికను పరాయి జ్యూరీల తీర్పుకు అప్పగించవద్దు. మూడో వంతు ఆటలను పేరు కూడా వినని చిత్రాలకు కేటాయించమని నా సలహా, ఎందుకంటే ఉత్సవానికి ప్రాణం ఆ వెతుకులాటలోనే ఉంది.

ఎంచుకున్న చిత్రం నేపథ్యం గురించి ఒకటి రెండు పుటలైనా ముందుగా చదవండి. పైన చెప్పిన రొమేనియా చిత్రం 1989 డిసెంబరులో ఆ దేశపు నియంత చౌషెస్కూ పాలన కూలిపోయే ముందటి కొద్ది గంటల్లో బుకారెస్ట్‌లోని ఆరుగురి జీవితాలను అల్లుతుంది. ఆ పతనం సంగతి తెలియనివారికి పాత్రల భయంలోని సగం బరువు అందదు.

ఇక మన కృష్ణా తీరం వారు ఆ ఏడాది వదులుకోకూడనిది పునరుద్ధరించిన పాత చిత్రాల విభాగం. రాజ్ కపూర్, తపన్ సిన్హా, మహమ్మద్ రఫీలతో పాటు అక్కినేని నాగేశ్వరరావు శతజయంతిని కూడా ఉత్సవం జరిపింది. గుడివాడ దగ్గరి రామాపురంలో 1924 సెప్టెంబరు 20న పుట్టిన ఆయన నటించిన 1953 నాటి 'దేవదాసు'ను కొత్తగా శుభ్రపరచిన ప్రతితో ప్రదర్శించారు. దాని దర్శకుడు వేదాంతం రాఘవయ్య కూచిపూడివారు. టీవీలో, ఫోన్‌లో అరిగిపోయిన ప్రతులతో ఈ చిత్రాన్ని చూసి తెలిసిన చిత్రమే కదా అని వదిలేయడం పెద్ద పొరపాటు. నలుపు తెలుపుల మధ్య ఉన్న అన్ని ఛాయలూ కనిపించేలా, మాట స్పష్టంగా వినిపించేలా దాన్ని పెద్ద తెరపై చూసే అవకాశం మళ్లీ ఎప్పుడు వస్తుందో చెప్పలేం. ఏ ఏడాది వెళ్లినా ఈ విభాగంలో కనీసం రెండు చిత్రాలు చూడండి.

ప్రయాణానికి విజయవాడ, గుంటూరుల మీదుగా గోవాలోని మడ్‌గావ్ వెళ్లే అమరావతి ఎక్స్‌ప్రెస్ అన్నిటికంటే అనువైనది. అది రోజూ నడవదు గనుక వారాలు చూసుకోండి. రైల్వే ముందస్తు రిజర్వేషన్ గడువు ఇప్పుడు 60 రోజులు కాబట్టి, ఉత్సవం నవంబరు 20న మొదలయ్యేట్టయితే సెప్టెంబరు 20 ప్రాంతంలోనే బెర్తు తీసుకోవాలి. సినిమాల పట్టిక వచ్చేదాకా ఆగితే వెయిటింగ్ లిస్టే మిగులుతుంది. మడ్‌గావ్ నుంచి పణజికి గోవా ప్రభుత్వ రవాణా సంస్థవైన కదంబ బస్సులు తరచుగా ఉంటాయి. బస మాత్రం పణజిలోనే చూసుకోండి, బీచ్ పక్కన వద్దు. రాత్రి చివరి ఆట ముగిశాక అంత దూరం వెళ్లడం కష్టం.

డెలిగేట్‌గా, అంటే ఉత్సవ ప్రేక్షకులుగా, నమోదు చేసుకున్నవారు ప్రతి ఆటకూ ఆన్‌లైన్‌లో సీటు విడిగా బుక్ చేసుకోవాలి. పేరున్న చిత్రాలకు సీట్లు చూస్తుండగానే అయిపోతాయి. దొరకకపోతే నిరాశపడకుండా రష్ లైన్‌లో ముందుగా నిలబడండి. ఖాళీగా మిగిలిన సీట్లు వారికే ఇస్తారు. పట్టిక వేసుకునేటప్పుడు హాళ్ల మధ్య దూరం గమనించాలి. పణజి ఐనాక్స్, మాక్వినెజ్ ప్యాలెస్ ఒకే ఆవరణలో ఉన్నాయి గానీ, పర్వరి హాలుకు మాండోవి నది వంతెన దాటాలి. ఆ రెంటి మధ్య వరుస ఆటలు పెట్టుకుంటే రెండో చిత్రం మొదలు పోతుంది, లేదా మొదటి చిత్రం తర్వాత దర్శకుడితో జరిగే ప్రశ్నోత్తరాలు పోతాయి. ఇంట్లో కూర్చుని పొందలేనిది ఈ సంభాషణే గనుక, ఆటల మధ్య కనీసం ముప్పావు గంట వదలండి. రోజుకు నాలుగు చిత్రాలు చాలు. ఐదోది కళ్లు చూస్తాయి గానీ మనసు చూడదు.

విదేశీ చిత్రాలకు ఇంగ్లీషు సబ్‌టైటిళ్లు ఉంటాయి. వాటిని చదువుతూ చూసే అలవాటు లేనివారు అక్టోబరు నుంచే వారానికి రెండు చిత్రాలు అలా చూసి సాధన చేయాలి, లేకపోతే మొదటి రెండు రోజులూ అక్షరాల వెంట పరుగుతోనే సరిపోతుంది. చూసిన ప్రతి చిత్రం గురించి అదే రాత్రి నాలుగు వాక్యాలు రాసుకోండి. మర్నాటికి కథలు ఒకదానిలో ఒకటి కలిసిపోతాయి. తిరుగు టికెట్టు 29 గానీ, ఆ తర్వాత రైలు ఉన్న రోజుకు గానీ తీసుకోండి, ఎందుకంటే బహుమతుల ప్రకటన, ముగింపు చిత్రం 28నే ఉంటాయి.