మీ కథలో చుక్కకి వింత వెలుగు ఇవ్వాలంటే

నా మొదటి మాయాలోకం కథలో ఒక చుక్క ఉండేది. పేరు మాటుచుక్క. దాని వెలుగు ఒంటి మీద పడితే గాయాలు మానిపోతాయి. రాసి మా చెల్లి చేతికిచ్చాను. నాలుగో పేజీలో ఆగి, "అక్కా, మరి వీళ్ళు యుద్ధం పగలెందుకు చేస్తున్నారు? రాత్రి దాకా ఆగొచ్చుగా?" అంది. ముప్పై పేజీల కథ అక్కడే కూలింది.

మళ్ళీ చదువుకుంటే తెలిసింది. చుక్కకి శక్తి ఇచ్చాను కానీ వెలుగు ఇవ్వలేదు. ఏ రంగో, ఎప్పుడు వస్తుందో, దాని కింద మనిషి మొహం ఎలా కనిపిస్తుందో ఎక్కడా లేదు. "అద్భుతమైన కాంతి" అని మాత్రం పదకొండుసార్లు ఉంది. అందుకే ఇప్పుడు శక్తి సంగతి చివరికి వదిలేసి, ముందు రంగు తేలుస్తాను.

నిజం చుక్కల్లో ఎర్రవి చల్లనివి, నీలివి వేడివి. ఎర్రగా కనిపించే ఆర్ద్ర నక్షత్రం పైభాగం వేడి సుమారు 3,500 కెల్విన్ (వేడిని కొలిచే ఒక ప్రమాణం), మన సూర్యుడిది 5,800 దాకా. నీలి చుక్కలు 10,000 దాటిపోతాయి. మీ లోకంలో దీన్ని తిరగేసుకోండి, ఎవరూ కాదనరు. తిరగేస్తున్నామని మీకు తెలిస్తే చాలు.

రంగు ఎంచుకున్నాక కుర్చీలో కూర్చుని ఊహించొద్దు, చేసి చూడండి. నేను మాటుచుక్కని ఎర్రది అనుకున్నాను. తెల్ల కాగితం మీద ఎర్ర పెన్నుతో ఒక వాక్యం, నీలం పెన్నుతో ఇంకోటి రాశాను. గదిలో లైట్లు ఆర్పి, ఫోన్ టార్చ్‌కి ఎర్ర సెల్లోఫేన్ కాగితం రెండు మడతలు చుట్టి వేశాను. నీలం అక్షరాలు కాటుకలా నల్లబడ్డాయి. ఎర్రవి లేవు. కాగితాన్ని ముక్కు దగ్గర పెట్టుకుని వెతికితే పెన్ను నొక్కిన గాడి మాత్రం వేలికి తగిలింది. కారణం తేలికే. ఎర్ర వెలుగులో తెల్ల కాగితం, ఎర్ర సిరా రెండూ ఒకేలా ఎరుపునే వెనక్కి పంపుతాయి, ఇక తేడా ఏముంటుంది? పక్కన పెట్టిన ఆకు కూడా నల్లగానే ఉంది.

గాయాలు మానడం ఆ రాత్రే కొట్టేశాను. ఇప్పుడు మాటుచుక్క ఉదయిస్తే రాజుగారి ఫర్మానాల్లో ఎర్ర సిరాతో రాసిన షరతులు కనిపించవు. కింద సంతకం పెట్టేవాడికి ఆ సంగతి తెలియదు.

అయితే ఒక చిక్కుంది. మామూలు చుక్కల వెలుగు చాలా తక్కువ. అంత తక్కువ వెలుగులో మన కంటికి రంగులు తెలియవు. చీకటి పడేకొద్దీ ముందుగా మసకబారేది ఎరుపే, నీలం ఇంకాసేపు నిలుస్తుంది. అందుకే "చుక్కల వెలుగులో ఆమె ఎర్ర చీర మెరిసింది" అని చదివితే నాకు నవ్వొస్తుంది. రంగు పని చేయాలంటే చుక్క నిండు చందమామ కన్నా బాగా వెలగాలి. మాటుచుక్కకి ఆ మేరకు కాంతి పెంచాను.

తర్వాత అది ఎప్పుడు వస్తుందో తేల్చాలి. ఇక్కడ ఆకాశం మనకన్నా పెద్ద కథకురాలు. ఆల్గోల్ అనే చుక్క 2 రోజుల 20 గంటల 49 నిమిషాలకోసారి మసకబారుతుంది. ఆ పేరుకి అరబ్బీలో దయ్యం అని అర్థం. 1783లో జాన్ గుడ్‌రిక్ అనే కుర్రాడు, అప్పటికి 18 ఏళ్ళు, చెవులు వినపడవు, దాని ముందుకి ఏదో చీకటి గోళం అడ్డం వస్తోందేమో అన్నాడు. తోడు చుక్క ఉందని 1889లో తేలింది. నాకు మీరా అనే ఇంకో చుక్క అంటే ఇంకా ఇష్టం. అది తనంతట తానే ఉబ్బుతూ తగ్గుతూ, దాదాపు 332 రోజులకోసారి కంటికి కనిపించి, మళ్ళీ నెలల తరబడి మాయమవుతుంది. 2019 చివర్లో ఆర్ద్ర మసకబారినప్పుడైతే, అది కక్కిన ధూళే దానికి అడ్డమైందని తేల్చారు.

అంటే ఏదో అడ్డం రావడం, తానే ఉబ్బడం, తన ధూళే కప్పేయడం. మీ చుక్కకి ఒక కారణం ఎంచుకుని నోట్‌బుక్‌లో రాసిపెట్టుకోండి, కథలో ఎవరి చేతా చెప్పించకండి. ఊళ్ళో ముసలాయన ఒక కారణం చెప్తాడు, పూజారి ఇంకోటి, ఇద్దరూ సగమే కరెక్ట్. మాటుచుక్కకి నేను మీరా లెక్కే తీసుకున్నాను.

దూరం సంగతీ చూసుకోండి. వెలుగు సెకనుకి సుమారు 3 లక్షల కిలోమీటర్లు పోతుంది. అయినా చుక్క నలభై కాంతి సంవత్సరాల దూరంలో ఉంటే, మంత్రగత్తె ఈ రాత్రి దాన్ని ఆర్పినా కింద జనానికి తెలిసేది నలభై ఏళ్ళకి. అప్పటికి ఆమె ముసలిదైపోయి కిటికీ దగ్గర కూర్చుని ఉంటుంది. ఇది ఇంకో కథకి దాచుకున్నాను.

ఇంకో చిన్న విషయం. మసక చుక్కని సూటిగా చూస్తే మాయమవుతుంది, పక్కకి చూస్తే కనిపిస్తుంది. మన కంటి నడుమ మసక వెలుగుని పట్టే కణాలు లేకపోవడం వల్ల. దీనికి మంత్రమేమీ కలపక్కర్లేదు, ఉన్నదున్నట్టు వాడేయండి.

రాసేటప్పుడు చుక్కని వర్ణించడం తగ్గించి, అది పడిన వస్తువుల్ని చూపించండి. నా కొత్త డ్రాఫ్టులో "అద్భుతం" ఒక్కసారి కూడా లేదు. గుమాస్తా ఫర్మానా చదువుతూ వేలితో కాగితాన్ని తడుముతాడు, గాడి తగులుతుంది, పురుగు కొరికిందనుకుని ఊరుకుంటాడు.

చెల్లి ఈసారి నాలుగో పేజీ దాటింది. పదహారో పేజీలో ఆగి, "గుమాస్తా పక్కన లాంతరు వెలుగుతోందిగా, దాని వెలుగులో ఎర్ర సిరా కనిపించదా?" అంది. ఇప్పుడు ఆ లాంతరు ఎవరు ఆర్పుతారో ఆలోచిస్తున్నాను.