రైలెక్కే ముందు అడగవలసినవి, ఫోను మూగబోతే చేయవలసినవి

శ్రీకాకుళం జిల్లాలో వలస వెళ్లిన మనిషి లేని వీధి అరుదు. ఎచ్చెర్ల, రణస్థలం తీరంలోని మత్స్యకారులు గుజరాత్‌లోని వేరావల్ దాకా వెళ్లి బోట్లు ఎక్కుతారు. ఉద్దానం యువకులు గల్ఫ్ దేశాలకు వెళతారు. మిగిలినవారు ఇచ్ఛాపురంలోనో, పలాసలోనో, ఆమదాలవలసలోనో రైలెక్కి హైదరాబాద్, చెన్నై నిర్మాణ పనులకు చేరుకుంటారు. వలస నేరం కాదు, పని చూపించి మనిషిని తీసుకువెళ్లడమూ నేరం కాదు. మోసపుచ్చో, బెదిరించో, డబ్బు ఆశ చూపో దోపిడీ కోసం తీసుకువెళితే మాత్రం అది మనుషుల అక్రమ రవాణా అవుతుంది. ఈ రెండింటి మధ్య తేడా బయలుదేరే రోజున పైకి కనిపించదు. అందువల్ల తరువాత అవసరమయ్యే ఆధారాలన్నీ ఆ రోజుకు ముందే ఇంట్లో ఉండాలి. పదవీ విరమణ తరువాత ఊరివారికి దరఖాస్తులు రాసిపెడుతున్న నేను తరచుగా చూసేది ఆ ఆధారాలు లేకపోవడమే. తీసుకువెళ్లినవాడు ఎవరని అడిగితే ‘పలాస ఏజెంటు’ అంటారు. అతని ఇంటిపేరు కూడా తెలియదు.

ముందుగా చట్టం ఏమంటుందో కొద్దిగా తెలుసుకోవాలి. రాజ్యాంగంలోని 23వ అధికరణం మనుషుల వ్యాపారాన్ని, వెట్టిని నిషేధించింది. 2024 జూలై 1 నుంచి పాత ఐపీసీ స్థానంలో అమలులో ఉన్న భారతీయ న్యాయ సంహితలోని 143వ సెక్షన్ ప్రకారం, దోపిడీ కోసం మనిషిని చేర్చుకున్నవాడితో పాటు తరలించినవాడు, దాచినవాడు, అప్పగించినవాడు, స్వీకరించినవాడు కూడా నేరస్థులే. శిక్ష కనీసం 7 సంవత్సరాల నుంచి 10 సంవత్సరాల వరకు ఉంటుంది. బాధితులు ఒకరి కంటే ఎక్కువమందైనా, లేదా పిల్లలైనా అది కనీసం 10 సంవత్సరాల నుంచి యావజ్జీవం దాకా పెరుగుతుంది. ఈ సెక్షన్‌లో సామాన్యులకు అన్నిటికంటే ఉపయోగపడేది దాని రెండవ వివరణ. బాధితుల సమ్మతిని ఈ నేర నిర్ణయంలో పరిగణించనక్కరలేదని అది చెబుతుంది. ‘మీ అమ్మాయి ఇష్టపడే వెళ్లింది కదా’, ‘మీరే సంతకం పెట్టారు కదా’ అని ఎవరైనా నోరు మూయించబోతే ఈ ఒక్క వాక్యాన్ని గుర్తుచేయాలి.

పొరుగు రాష్ట్రంలో పనికి వెళుతున్నప్పుడు ఒక నోటుపుస్తకంలో కొన్ని వివరాలు రాసి ఇంట్లో ఉంచండి. మేస్త్రీ పూర్తి పేరు, తండ్రి పేరు, ఊరు, ఆధార్ జిరాక్సు, ఫోటో, అతని పైన ఉన్న కాంట్రాక్టరు పేరు, పని జరిగే చోటు, రోజు కూలి, ఎన్ని రోజులకు ఒకసారి లెక్క చూస్తారు, రైలు టిక్కెట్టు నకలు, కలిసి వెళ్లే తోటివారి పేర్లు, వారి ఇళ్ల ఫోన్ నంబర్లు అందులో ఉండాలి. వివరాలు చెప్పడానికి మేస్త్రీ సణిగితే, ఆ సణుగుడే మనకు ఒక సమాచారం. వెళ్లేవారి ఆధార్ కార్డు అసలుది ఎవరి చేతికీ ఇవ్వకూడదు. ఈ పుస్తకంలోని ఒక పేజీ నకలును గ్రామ సచివాలయంలోని మహిళా పోలీసుకు ఇచ్చి, తేదీ వేయించుకోవడం మంచిది.

అడ్వాన్సు సంగతి కొంచెం వివరంగా చెప్పాలి, ఎందుకంటే మన ప్రాంతంలో ఎక్కువమంది చిక్కుకునేది ఇక్కడే. పండుగకో, పెళ్లికో, ఆసుపత్రి ఖర్చుకో మేస్త్రీ దగ్గర డబ్బు తీసుకుని, పని చేసి తీర్చేస్తామని మాట ఇస్తారు. అడ్వాన్సు తీసుకోవడం దానంతట అది తప్పు కాదు. అయితే దాన్ని అడ్డుపెట్టుకుని పనిచేసే చోటు విడిచి వెళ్లనివ్వకపోయినా, వేరే పని చూసుకోనివ్వకపోయినా, కనీస వేతనం కంటే తక్కువ ఇచ్చినా, అది 1976 నాటి వెట్టి చాకిరీ నిర్మూలన చట్టం కిందికి వస్తుంది. ఆ చట్టం ప్రకారం వెట్టి అప్పు రద్దయినట్టే, దాన్ని తీర్చనక్కరలేదు. అది వెట్టి అప్పు కాదని రుజువు చేసే భారం కూడా అప్పిచ్చినవాడి మీదే ఉంటుంది. కనీస వేతనం కంటే తక్కువకు పని చేయించుకోవడం 23వ అధికరణం నిషేధించిన నిర్బంధ శ్రమే అవుతుందని సుప్రీంకోర్టు 1982లోనే, ఢిల్లీ ఆసియా క్రీడల నిర్మాణ కార్మికుల కేసులో తేల్చిచెప్పింది. ‘తీసుకున్నాం కాబట్టి తీర్చేదాకా ఉండాల్సిందే’ అనుకోవడం మనవారి నిజాయితీయే కానీ, ఆ నిజాయితీని తాళంలా వాడుకునేవాడి పట్ల దానికి చోటు లేదు. అడ్వాన్సు ఎంత, ఏ తేదీన, ఎవరి ముందు తీసుకున్నారు, నెలకు ఎంత కోత అన్నవి రాయించి, ఒక కాగితం ఇంట్లో పెట్టుకోండి.

విదేశాలకు వెళ్లేవారు 1983 నాటి వలసల చట్టాన్ని తెలుసుకోవాలి. కేంద్ర విదేశాంగ శాఖ వద్ద నమోదు కాని వ్యక్తి ఎవరినీ విదేశీ ఉద్యోగానికి పంపకూడదు. నమోదైన ఏజెంట్ల జాబితా ‘ఈ-మైగ్రేట్’ వెబ్‌సైటులో ఉంటుంది కనుక, ఏజెంటు చెప్పిన నమోదు సంఖ్యను అక్కడ సరిచూసుకోవాలి. సేవా రుసుము 30,000 రూపాయలకు, దానిపై జీఎస్టీకి మించరాదు, రసీదు తప్పనిసరి. లక్షల్లో అడిగి, డబ్బు చేతికిమ్మని, రసీదు ఎందుకని ఎదురు ప్రశ్నిస్తే అక్కడితో ఆగిపోండి. పదవ తరగతి పాసవ్వనివారి పాస్‌పోర్టుపై ఈసీఆర్ (వలస తనిఖీ అవసరం) గుర్తు ఉంటుంది, వారు గల్ఫ్ వంటి దేశాలకు ఉద్యోగానికి వెళ్లాలంటే వలస అనుమతి తీసుకోవాలి. ఈ అనుమతిని తప్పించుకోవడానికే విజిట్ వీసా మీద పంపుతారు. విజిట్ వీసా మీద దిగినవారికి ఉద్యోగ ఒప్పందం ఉండదు, జీతం రాకపోతే అడిగే దారీ సన్నగిల్లుతుంది. ఈసీఆర్ పాస్‌పోర్టు ఉన్న 30 ఏళ్లు నిండని స్త్రీలకు ఆ దేశాలకు అనుమతి ఇవ్వరు కాబట్టి, వయసు మార్చి పాస్‌పోర్టు చేయిస్తామన్న మాట వినగానే అనుమానించాలి. రాష్ట్ర ప్రభుత్వానికి సొంత విదేశీ ఉద్యోగ నియామక సంస్థ ఉంది, దాని పేరు ‘ఓంక్యాప్’. ముందు అక్కడ విచారించడం మేలు.

చదువుకున్న పిల్లలూ దీనికి అతీతులు కారు. డేటా ఎంట్రీ ఉద్యోగమని చెప్పి కంబోడియా తీసుకువెళ్లి, అక్కడ సైబర్ మోసాలు చేయించిన ముఠా ఏజెంట్లను 2024లో విశాఖపట్నం పోలీసులు అరెస్టు చేశారు. థాయ్‌లాండ్‌లో ఉద్యోగమని చెప్పి సరిహద్దు దాటించి మయన్మార్‌లో బంధించిన భారతీయులను 2025 మార్చిలో వాయుసేన విమానాల్లో తీసుకువచ్చారు. ఇంటర్వ్యూ వాట్సాప్‌లో ముగిసిపోయి, పని కంటే జీతం పెద్దదిగా వినిపిస్తే, ఆ సంస్థ గురించి ఆ దేశంలోని భారత రాయబార కార్యాలయానికి ఈ-మెయిలు రాసి అడగవచ్చు.

పిల్లల విషయంలో చర్చకు తావు లేదు. 14 ఏళ్ల లోపు పిల్లలను పనిలో పెట్టుకోవడం నేరం, 18 ఏళ్ల లోపువారిని ప్రమాదకరమైన పనుల్లో పెట్టుకోవడమూ నేరమే. కట్నం అక్కరలేదు, ఎదురు డబ్బిస్తామంటూ దూర రాష్ట్రం నుంచి వచ్చిన సంబంధాన్ని వరుడి ఊరు వెళ్లి చూడకుండా ఒప్పుకోవద్దు. మైనరు బాలికను అమ్మి గానీ, మభ్యపెట్టి తీసుకువెళ్లి గానీ చేసిన పెళ్లి 2006 నాటి బాల్య వివాహ నిషేధ చట్టం ప్రకారం అసలు చెల్లదు. స్టేషనులో బెదురుగా ఉన్న పిల్లలు తెలియని పెద్దలతో కనిపిస్తే పిల్లల సహాయ నంబరు 1098కి గానీ, రైల్వే నంబరు 139కి గానీ ఫోన్ చేయాలి. పొరపాటు అనుమానమైతే ఏమవుతుందోనని వెనుకాడవద్దు, విచారించడం వారి పని.

ఇక ఫోను మూగబోయినప్పుడు. రెండు మూడు రోజులు చూద్దామని ఆగకండి. అత్యవసరమైతే 112కు చెప్పి, వెంటనే దగ్గరలోని పోలీసు స్టేషనులో రాతపూర్వకంగా ఫిర్యాదు ఇవ్వండి. సంఘటన ఇక్కడ జరగలేదని తిప్పి పంపే హక్కు స్టేషనుకు లేదు. పాత సీఆర్‌పీసీ స్థానంలో వచ్చిన భారతీయ నాగరిక సురక్షా సంహితలోని 173వ సెక్షన్ ప్రకారం నేరం ఎక్కడ జరిగినా సమాచారాన్ని నమోదు చేయాలి, దీన్నే జీరో ఎఫ్‌ఐఆర్ అంటారు. తప్పిపోయినది పిల్లలైతే దాన్ని అపహరణగానో, అక్రమ రవాణాగానో భావించి కేసు నమోదు చేయాలని 2013లో సుప్రీంకోర్టు ఆదేశించింది.

ఫిర్యాదులో ఏడుపు కంటే వివరం ముఖ్యం. ఎవరు, ఏమి చెప్పి, ఏ తేదీన, ఏ రైలులో తీసుకువెళ్లారు, ఎంత డబ్బు ఎవరి చేతుల మీదుగా మారింది, చివరిసారి ఏ నంబరు నుంచి ఎన్ని గంటలకు మాట్లాడారు, ఆ మాటల్లో ఏమి అన్నారు అన్నవి వరుసగా రాయాలి. ‘కనబడుటలేదు’ అని మాత్రమే రాస్తే అది అదృశ్యం కేసుగా మిగిలిపోతుంది. మోసం, ఆశ చూపడం, కదలనివ్వకపోవడం అన్న సంగతులు జరిగినవి జరిగినట్టు కనిపించాలి. ఒక మెలిక కూడా గమనించాలి. 143వ సెక్షన్ వివరణలో శారీరక, లైంగిక దోపిడీ, బానిసత్వం, భిక్షాటన వంటివి ఉన్నాయి కానీ ‘నిర్బంధ శ్రమ’ అనే మాట విడిగా లేదు. అందుకని పని చోట బంధించిన కేసుల్లో 143తో పాటు చట్టవిరుద్ధంగా బలవంతపు పని చేయించడానికి సంబంధించిన 146వ సెక్షన్‌ను, వెట్టి చాకిరీ చట్టాన్ని కూడా చేర్చమని ఫిర్యాదులోనే కోరడం ఉత్తమం.

ఎఫ్‌ఐఆర్ నకలు ఉచితంగా ఇవ్వాలి. నమోదు చేయకపోతే అదే ఫిర్యాదును జిల్లా ఎస్పీకి రిజిస్టరు పోస్టులో పంపండి, అప్పటికీ కదలిక లేకపోతే మేజిస్ట్రేటు కోర్టుకు వెళ్లవచ్చు. 143వ సెక్షన్, అక్రమ రవాణాకు గురైనవారిని లైంగిక దోపిడీ చేసేవారికి వర్తించే 144వ సెక్షన్ కిందికి వచ్చే సమాచారాన్ని నమోదు చేయని ప్రభుత్వోద్యోగికి న్యాయ సంహితలోని 199వ సెక్షన్ కింద కనీసం 6 నెలల జైలు శిక్ష ఉంది. ఈ మాటను స్టేషనులో వాదనగా కాక, ఎస్పీకి పంపే అర్జీలో ఒక వాక్యంగా రాస్తే పని త్వరగా జరుగుతుందని నా అనుభవం. వెట్టి కేసయితే మరొక ప్రతిని కలెక్టరుకు, ఇంకొకటి టెక్కలి, పలాస, శ్రీకాకుళంలలో మీ డివిజను ఆర్డీవోకు ఇవ్వాలి. బాధితులున్న జిల్లా కలెక్టరుకు ఇక్కడి కలెక్టరు రాయగలరు. వకీలు ఖర్చు గురించి బెంగ వద్దు, అక్రమ రవాణా బాధితులకు ఆదాయంతో నిమిత్తం లేకుండా జిల్లా న్యాయ సేవాధికార సంస్థ ఉచితంగా న్యాయవాదిని ఇస్తుంది, నంబరు 15100.

మనిషి తిరిగి వచ్చాక ఇంట్లో సందడి మొదలవుతుంది, ఫోటోలు వాట్సాప్ గ్రూపుల్లోకి పోతాయి. బాలబాలికలైతే వారి పేరు, ముఖం బయటపెట్టడం చట్టరీత్యా నేరం. పిల్లలను 24 గంటల్లోగా బాలల సంక్షేమ సమితి ముందు హాజరుపరచాలి. వెట్టి నుంచి బయటపడ్డవారు అక్కడి అధికారులు ఇచ్చే విడుదల ధ్రువపత్రం లేకుండా రైలెక్కవద్దు. తక్షణ సాయంగా ఇచ్చే 30,000 రూపాయల వరకు సొమ్ముకూ, తరువాత వచ్చే పునరావాస సాయానికీ ఆ కాగితమే ఆధారం. ఆ సాయం పురుషులకు 1 లక్ష, స్త్రీలకు, పిల్లలకు 2 లక్షలు, అతి తీవ్రమైన కేసుల్లో 3 లక్షలు. పెద్ద మొత్తం కేసు తేలాకే వస్తుంది కనుక, ధ్రువపత్రానికి మూడు జిరాక్సులు తీయించి, అసలుది ఇంట్లోనే దాచి, కలెక్టరేటులో నకలు ఇచ్చిన రోజున దానిపై తేదీతో ముద్ర వేయించుకోండి.