పెప్సీమ్యాన్, కూల్ స్పాట్ సరిగా నడవకపోతే: సమస్య - పరిష్కారం

పెప్సీ, సెవెన్-అప్ ప్రకటనల బొమ్మలతో వచ్చిన ఈ పాత వీడియో గేములు మొరాయిస్తే ఎమ్యులేటర్‌ని (పాత గేమ్ యంత్రాన్ని అనుకరించే ప్రోగ్రామ్‌ని) తిట్టుకుంటాం. చాలాసార్లు తప్పు డంప్‌లోనే (డిస్క్ లేదా కార్ట్రిడ్జ్ నుంచి తీసిన కాపీలోనే) ఉంటుంది. ముందు దాన్నే అనుమానించండి.

సమస్య: పెప్సీమ్యాన్ ఆట నడుస్తోంది, మధ్యలో వచ్చే వీడియోలు మాత్రం ఆగిపోతున్నాయి, లేదా మూగగా వస్తున్నాయి

కారణం: డిస్క్‌ని ఐఎస్‌ఓ రకం ఫైల్‌గా తీశారు. ఐఎస్‌ఓలో సెక్టారుకి (డిస్క్‌లోని ఒక్కో చిన్న ముక్కకి) 2048 బైట్లే మిగులుతాయి. ప్లేస్టేషన్ వీడియోల శబ్దం (ఎక్స్‌ఏ ఆడియో) ఉండేది మోడ్ 2, ఫారం 2 అనే రకం సెక్టార్లలో; అక్కడ డేటాయే 2324 బైట్లు. మిగిలినదంతా కత్తెర పాలే. అలా పోయిన బైట్లని ఏ కన్వర్టరూ వెనక్కి తేలేదు.

పరిష్కారం: డిస్క్‌ని సెక్టారుకి 2352 బైట్ల చొప్పున, బిన్-క్యూ రూపంలో (డేటా ఉండే బిన్ ఫైల్, దాని వివరాలు చెప్పే క్యూ ఫైల్) మళ్లీ తీయండి. రెండుసార్లు తీసి ఎస్‌హెచ్‌ఏ-1 హాష్ (ఫైల్‌లోని బైట్ల నుంచి లెక్కగట్టే గుర్తు) పోల్చండి. తేడా వస్తే డిస్క్‌ని మెత్తని గుడ్డతో మధ్య నుంచి అంచుకి తిన్నగా తుడవండి (గుండ్రంగా తిప్పొద్దు), అప్పటికీ కుదరకపోతే డ్రైవ్ మార్చండి. రెండూ ఒకటైతే సరైన డిస్క్ డంప్‌ల హాష్‌లుండే రీడంప్ జాబితాతో సరిచూసుకోండి. సీహెచ్‌డీ అనే చిన్న ఫైల్‌గా కుదించడం ఆ తర్వాతే.

సమస్య: బిన్ ఫైల్ దొరకలేదంటోంది

ఎవరో ఫైల్ పేరు మార్చారు. క్యూ ఫైల్‌ని నోట్‌ప్యాడ్‌లో తెరిచి, లోపలి పేరు సరిచేస్తే చాలు.

సమస్య: బీటిల్ పీఎస్ఎక్స్ అనే ప్లేస్టేషన్ ఎమ్యులేటర్‌లో పెప్సీమ్యాన్ బూటే కావడం లేదు

పెప్సీమ్యాన్ 1999లో జపాన్‌లో మాత్రమే వచ్చింది. కాబట్టి అమెరికా బయోస్ (యంత్రాన్ని మొదలుపెట్టే ప్రోగ్రామ్ ఫైల్) ఒక్కటే పెట్టుకుంటే చాలదు, జపాన్ బయోస్ ఎస్‌సీపీహెచ్5500 కావాలి. సైజు సరిగ్గా 524288 బైట్లు ఉండాలి. లైనక్స్, ఆండ్రాయిడ్‌లలో ఫైల్ పేరు అంతా చిన్న అక్షరాల్లోనే ఉండాలి.

సమస్య: సెగా మెగా డ్రైవ్ యంత్రానికి వచ్చిన కూల్ స్పాట్ కార్ట్రిడ్జ్‌ని చదివిన ప్రతిసారీ వేరే హాష్ వస్తోంది

పిన్నుల మీద మురికి పట్టింది. 99% ఐసోప్రొపైల్ ఆల్కహాల్‌లో ఇయర్‌బడ్ ముంచి తుడిచి, పూర్తిగా ఆరాకే డంపర్‌లో (కార్ట్రిడ్జ్‌ని చదివే పరికరంలో) పెట్టండి. గరుకు కాగితం జోలికి పోవద్దు, పైపూత లేచిపోతుంది.

హాష్ నిలకడగా ఉన్నా, సరైన కార్ట్రిడ్జ్ డంప్‌ల హాష్‌లుండే నో-ఇంట్రో జాబితాతో కలవకపోతే ఫైల్ సైజు చూడండి. ఈ ఆట 1048576 బైట్లు. సరిగ్గా దానికి రెట్టింపు ఉంటే డంపర్ చిప్‌ని దాటి చదివింది. రెండు సగాలూ ఒకేలా ఉంటే రెండోది కోసేయండి. 512 బైట్లు అదనంగా ఉంటే పాత కాపియర్ల (కార్ట్రిడ్జ్‌ని కాపీ చేసే పరికరాల) ఎస్‌ఎండీ ఫార్మాట్: 16 కేబీ ముక్కల్లో సరి, బేసి బైట్లని విడదీసి దాస్తుంది. కన్వర్టర్‌తో బిన్‌గా మార్చి, హెక్స్ ఎడిటర్‌లో 100వ హెక్స్ స్థానం చూడండి. అక్కడ ‘సెగా’ అన్న పేరు కనిపిస్తే బైట్లు వరుసలో పడ్డట్టే.