లెక్క సరిచూడటం నేర్చుకుందాం – 4వ పాఠం: ఈ రసీదు ఎవరి చేతి మీదుగా వచ్చింది?

ముందు పోయిన పాఠం చివర ఇచ్చిన ప్రశ్న సంగతి తేల్చేద్దాం. ముంబయిలో పంజాబ్ నేషనల్ బ్యాంక్ బ్రాడీ హౌస్ శాఖలో 2011లో మొదలైన మోసం 2018 జనవరి దాకా ఎందుకు బయటపడలేదు అని అడిగాను. "పాస్‌వర్డ్‌లు ఒకరికొకరు ఇచ్చుకున్నారు కాబట్టి" అని రాసుకుంటే సగం మార్కులే. అసలు కారణం, ఆ శాఖలో రెండు పుస్తకాలున్నాయి, ఆ రెండింటినీ పక్కపక్కన పెట్టి చూసినవాళ్లు లేరు. వజ్రాల వ్యాపారి నీరవ్ మోదీ కంపెనీల తరఫున విదేశాల్లోని బ్యాంకు శాఖలకు హామీలు ("వీళ్లకు అప్పివ్వండి, మాది పూచీ" అనే మాట) వెళ్లింది స్విఫ్ట్ అనే, బ్యాంకుల మధ్య సందేశాల వ్యవస్థలో. బ్యాంకు రోజువారీ లెక్క ఉండేది సీబీఎస్‌లో, అంటే ఖాతాలన్నీ ఉండే కోర్ బ్యాంకింగ్ కంప్యూటర్‌లో. హామీ స్విఫ్ట్‌లో వెళ్లింది, సీబీఎస్‌లో ఎక్కలేదు. అప్పట్లో ఆ రెండింటికీ లంకె లేదు.

బయటపడిన తీరు చూడండి, ముచ్చటగా ఉంటుంది. పాత అధికారి రిటైరయ్యాడు. 2018 జనవరిలో అవే కంపెనీలవాళ్లు మళ్లీ హామీ కావాలని వచ్చారు. కొత్త అధికారి "నూటికి నూరు శాతం మార్జిన్ కట్టండి" అన్నాడు, అంటే హామీ మొత్తానికి సరిపడా సొమ్ము ముందే పెట్టమని. "ఇంతకు ముందెప్పుడూ కట్టలేదే" అన్నారు వాళ్లు. ఆయన పుస్తకం తెరిచాడు. అందులో "ఇంతకు ముందు" అన్నదే లేదు! వాళ్లు కిక్కురుమనకుండా వెనక్కి వెళ్లిపోయి ఉంటే ఇంకెన్నాళ్లు సాగేదో. స్టాక్ ఎక్స్ఛేంజీలకు మొదట చెప్పిన మొత్తం సుమారు 11,400 కోట్లు. తర్వాత అది 13,000 కోట్లు దాటింది.

సరే, ఈవేళ్టి పాఠం. విషయం చిన్నది: ఫిక్స్‌డ్ డిపాజిట్ రసీదు. మీ అపార్ట్‌మెంట్ సంఘానికో, గుడి కమిటీకో, కులసంఘం హాస్టల్‌కో మీరు కోశాధికారి అనుకోండి. బీరువాలో ఒక ఎఫ్‌డీ రసీదు ఉంది. అది నిజమో కాదో మీకు మీరుగా తేల్చుకోవడం నేర్చుకోవాలి.

బయటి దొంగకూ లోపలి దొంగకూ ఉన్న తేడా ఇక్కడే ఉంది. 2024 నవంబరులో వరంగల్ జిల్లా రాయపర్తిలో స్టేట్ బ్యాంకు శాఖలో దొంగలు కిటికీ గుండా దూరి, గ్యాస్ కట్టర్‌తో లాకర్ కోసి, తాకట్టు బంగారం 19 కిలోల పైగా ఎత్తుకెళ్లారు. పొద్దున సిబ్బంది తలుపు తీయగానే సంగతి ఊరంతా తెలిసిపోయింది. లోపలి దొంగ ఏ కిటికీ కొయ్యడు. పోయిన డబ్బు చోట ఒక కాగితం పెట్టి వెళ్తాడు, మనం ఆ కాగితాన్ని చూసుకుని ధీమాగా ఉంటాం. కాబట్టి మనం నేర్చుకోవాల్సింది కాగితాన్ని ప్రశ్నలు అడగడం. మొదటి ప్రశ్న ఒకటే: నువ్వు ఎవరి చేతి మీదుగా వచ్చావు?

నా అనుభవం ఒకటి చెబుతాను. రిటైరయ్యాక గోదావరి వైపు ఒక గుడి కమిటీ వాళ్లు లెక్కలు చూసిపెట్టమంటే వెళ్లాను. కోశాధికారి పాతకాలపు లెక్కల మాస్టారు. పైసా పైసాకీ ఓచరు. దస్త్రం చూస్తే కళ్లు చల్లబడతాయి. అందులో 25 లక్షల ఎఫ్‌డీ రసీదు ఉంది. ఏడాది గడువు, వడ్డీ 7 శాతం, మెచ్యూరిటీ మొత్తం 26,75,000. బ్యాంకు బొమ్మ, రబ్బరు స్టాంపు, సంతకం, అన్నీ ఉన్నాయి.

"మాస్టారూ, ఇది ఎవరు తెచ్చారు?"

"మన బ్యాంకు కుర్రాడేనండి. పెద్దవాణ్ని, ఎండలో రావడం ఎందుకని ఇంటికే తెచ్చి ఇస్తాడు. చాలా మంచివాడు."

మంచివాడే కావచ్చు. కాగితం ముక్క తీసుకుని లెక్క వేద్దామన్నాను. మీరూ పెన్ను తీసుకోండి, ఈ పాఠంలో గుండెకాయ ఇదే.

మన బ్యాంకుల్లో డిపాజిట్ వడ్డీని మామూలుగా మూడు నెలలకోసారి అసలులో కలుపుతారు. 7 శాతాన్ని నాలుగు భాగాలు చేస్తే త్రైమాసికానికి 1.75 శాతం. మొదటి మూడు నెలలకు 25,00,000 మీద 43,750. మొత్తం 25,43,750. రెండో త్రైమాసికంలో దీని మీద 44,516 వస్తుంది, మొత్తం 25,88,266. మూడోసారి 45,295 కలిపితే సుమారు 26,33,560. నాలుగోసారి 46,087 కలిస్తే 26,79,648 తేలుతుంది. రసీదులో ఉన్నది 26,75,000. తేడా 4,648 రూపాయలు.

వడ్డీని మూడు నెలలకోసారి చేతికి తీసుకునే రకం డిపాజిట్ అయితే గడువు నాటికి వచ్చేది అసలు 25 లక్షలే. అంటే 26,75,000 అనే అంకె ఈ రెండు పద్ధతుల్లో దేనిలోనూ రాదు. అది బడిలో నేర్పే బారువడ్డీ. కంప్యూటరు ఆ తప్పు చేయదు, మనిషి చేస్తాడు. మాస్టారు ఆ కాగితం వంక చూసి, చూసి, "నేను పిల్లలకు చక్రవడ్డీ నలభై ఏళ్లు చెప్పానండి" అన్నారు. ఆ మాట నాకిప్పటికీ గుర్తే.

మర్నాడు ఇద్దరం శాఖకు వెళ్లాం. రసీదు మీది నంబరు నిజమైనదే. కానీ అది ఇంకెవరిదో 50 వేల డిపాజిట్. మరి 25 లక్షలు ఏమయ్యాయి? కమిటీ ఇచ్చిన చెక్కు మీద కేవలం బ్యాంకు పేరు రాసి ఉంది, ఎవరి ఖాతాకో, దేనికో రాయలేదు. బ్యాంకు పేరు మీద ఉత్తినే రాసిన చెక్కును లోపలివాళ్లు ఏ ఖాతాకైనా తిప్పగలరు. తిప్పారు కూడా. బ్యాంకు తప్పు ఒప్పుకుని డబ్బు వెనక్కి ఇవ్వడానికి పద్నాలుగు నెలలు పట్టింది. ఆ పద్నాలుగు నెలలూ మాస్టారు గుడి వైపు రాలేదు.

అందుకని ఒక అలవాటు చేసుకోండి. ఎఫ్‌డీకి చెక్కు రాసేటప్పుడు బ్యాంకు పేరు తర్వాత "ఫలానా సంఘం పేరిట ఫిక్స్‌డ్ డిపాజిట్ కొరకు" అని అదే వరుసలో పూర్తిగా రాయండి. వెనక ఖాతా నంబరు వేయండి. అంతకంటే మంచిది, సంఘం సేవింగ్స్ ఖాతా ఏ శాఖలో ఉందో అక్కడే, అదే కస్టమర్ ఐడీ కింద డిపాజిట్ చేయడం. అప్పుడు నెట్ బ్యాంకింగ్‌లో అది మీ కళ్ల ముందే ఉంటుంది. ఎక్కడో దూరపు శాఖలో పావు శాతం వడ్డీ ఎక్కువ ఇప్పిస్తానని ఎవరైనా మధ్యవర్తి వస్తే, ఆ పావు శాతం మీకు ఎవరు ఇస్తున్నారో, ఎందుకు ఇస్తున్నారో ఒక్కసారి ఆలోచించండి.

చిన్న కమిటీలకే ఇలా జరుగుతుందని అనుకోకండి. పోటీ పరీక్షలకు చదివిన ప్రతి ఇంట్లోనూ తెలుగు అకాడమీ పుస్తకాలుంటాయి. 2021 సెప్టెంబరులో అదే అకాడమీ డిపాజిట్ల సొమ్ము సుమారు 64 కోట్లు మాయమైన సంగతి బయటికొచ్చింది. హైదరాబాద్‌లో కార్వాన్, సంతోష్‌నగర్, చందానగర్ బ్యాంకు శాఖల్లో వేసిన డిపాజిట్లు. అకాడమీ బీరువాలో రసీదులు భద్రంగా ఉన్నాయి. బ్యాంకుకు వెళితే డబ్బు ఎప్పుడో తీసేశారన్నారు. బ్యాంకు లోపలివాళ్లు, బయటి దళారులు, ఒక సహకార క్రెడిట్ సొసైటీ, అందరూ కలిస్తేనే అయిన పని అది. పోలీసులు తర్వాత చాలామందిని పట్టుకున్నారు. మన పాఠానికి కావాల్సింది వేరే: ఆ రసీదులు బ్యాంకు నుంచి అకాడమీకి నేరుగా వచ్చి ఉంటే, అకాడమీ నుంచి ఒక ఉత్తరం నేరుగా బ్యాంకుకు వెళ్లి ఉంటే, సంగతి ఎన్నాళ్లు దాగేది?

ఇదే జబ్బు పెద్ద సైజులో చూడాలంటే సత్యం కంప్యూటర్స్ కంపెనీ. 2009 జనవరి 7న దాని ఛైర్మన్ రామలింగరాజు తప్పు ఒప్పుకుంటూ రాసిన ఉత్తరంలో పుస్తకాల్లో చూపిన నగదు, బ్యాంకు నిల్వలు 5,361 కోట్లు, అందులో లేనివి 5,040 కోట్లు. ఆ పక్కనే ఇంకో అంకె ఉంది, చాలామంది దాటేసి వెళ్లిపోతారు: రావాల్సిన వడ్డీ 376 కోట్లు, అదీ లేనిదే. లేని డిపాజిట్‌కు లేని వడ్డీ. అబద్ధపు డిపాజిట్ ఒకటి సృష్టిస్తే దానికి ప్రతి మూడు నెలలకూ అబద్ధపు వడ్డీ పుట్టించాలి. మనం పట్టుకునేది ఆ తోక దగ్గరే.

మరి ఆడిటర్లు? బ్యాంకుకు వెళ్లే ఉత్తరాలను పంపడం, జవాబులు తీసుకోవడం సత్యం యాజమాన్యం చేతికే వదిలేశారని అమెరికా సెక్యూరిటీస్ కమిషన్ (అక్కడి షేర్ మార్కెట్ నియంత్రణ సంస్థ) 2011లో తేల్చింది. ఎవరి లెక్క సరిచూడాలో వాళ్ల చేతికే జవాబు పత్రం ఇచ్చినట్టు. మాస్టారి ఇంటికి రసీదు తెచ్చిన కుర్రాడికీ దీనికీ తేడా సున్నాల్లోనే.

ఇక మీ చేతి పని. ముందుగా పైన చేసినట్టు మెచ్యూరిటీ లెక్క వేయండి. సరిపోతే నిజమని కాదు, సరిపోకపోతే మాత్రం ఆ రోజే బయల్దేరండి. తర్వాత సంఘం సేవింగ్స్ ఖాతా స్టేట్‌మెంట్‌లో డిపాజిట్ వేసిన రోజు డెబిట్ ఎంట్రీ వెతకండి. ఆ పక్కన రాసి ఉన్న నంబరూ రసీదు మీది నంబరూ ఒకటేనా?

మూడోది టీడీఎస్, అంటే వడ్డీలోంచి బ్యాంకు ముందే పట్టుకుని కట్టే పన్ను. ఇది నాకు చాలా ఇష్టమైన దారి, ఎందుకంటే ఈ సమాచారం బ్యాంకు నుంచి ఆదాయపు పన్ను శాఖకు వెళ్లి, అక్కణ్నుంచి మీకు వస్తుంది. శాఖలో కుర్రాడి చేయి పడదు. 2025 ఏప్రిల్ నుంచి ఏడాదికి వడ్డీ 50 వేలు దాటితే, పాన్ ఇచ్చి ఉంటే, 10 శాతం పట్టుకుంటారు (సీనియర్ సిటిజన్లకు పరిమితి లక్ష). మాస్టారి డిపాజిట్ నిజమైనదైతే 1,79,648 వడ్డీ మీద దాదాపు 17,965 టీడీఎస్ కనిపించాలి. మీ సంఘం పాన్‌తో ఆదాయపు పన్ను పోర్టల్‌లో ఏఐఎస్ (మీ పాన్ మీద వచ్చిన వడ్డీ, పట్టుకున్న పన్ను వివరాల పట్టిక) తెరిచి చూడండి. పన్ను మినహాయింపు పత్రం ఇచ్చిన సంస్థలకు టీడీఎస్ ఉండకపోవచ్చు, అప్పుడు వడ్డీ వివరమైనా ఉందేమో చూడాలి. ఏదీ లేదంటే రసీదుకు అవతల డబ్బు లేదన్న అనుమానం గట్టిపడ్డట్టే.

నాలుగోది ఉత్తరం. శాఖ మేనేజరుకు రాయండి, దాని నకలు బ్యాంకు ప్రాంతీయ కార్యాలయానికి పంపండి. చిరునామా, ఫోను నంబరు రసీదు మీద చూసి కాదు, బ్యాంకు వెబ్‌సైటులో చూసి తీసుకోండి. దొంగ రసీదు మీద దొంగ ఫోను నంబరే ఉంటుంది. జవాబు సంఘం ఈమెయిల్‌కు, బ్యాంకు సొంత డొమైన్ నుంచే రావాలి. ఉత్తరంలో ఐదు అడగండి: డిపాజిట్ ఎవరి పేరిట ఉంది, తెరిచిన తేదీ, ఈ రోజు నిల్వ, నమోదైన మొబైల్ నంబరు చివరి నాలుగంకెలు, దాని మీద లీన్ ఏమైనా ఉందా.

ఈ చివరిది చాలామంది అడగరు. లీన్ అంటే డిపాజిట్‌ను తాకట్టుగా పట్టి ఉంచడం. రసీదు అసలుదే, డబ్బు బ్యాంకులోనే ఉంది, టీడీఎస్ కూడా సక్రమంగా కనబడుతోంది. కానీ దాని మీద ఎవరో అప్పు తీసేసుకున్నారు. గడువు నాటికి మీరు వెళ్తే అప్పు మినహాయించుకుని మిగిలింది చేతిలో పెడతారు. మనం ఇప్పటిదాకా చేసిన మూడు పరీక్షలూ దీన్ని పట్టుకోలేవు.

అభ్యాసం: ఒక కాలనీ సంఘం 10 లక్షలు రెండేళ్లకు 6.8 శాతం వడ్డీతో వేసింది. రసీదు మీద మెచ్యూరిటీ 11,44,373. ముందు ఆ అంకె సరైనదో కాదో మీరే వేసి చూసుకోండి, ఎనిమిది త్రైమాసికాలు వస్తాయి. సేవింగ్స్ ఖాతాలో డెబిట్ ఉంది. ఏఐఎస్‌లో వడ్డీ ఉంది. బ్యాంకు నుంచి వచ్చిన జవాబులో మాత్రం "లీన్: 9,00,000" అని ఉంది. కోశాధికారి తానేమీ సంతకం చేయలేదంటున్నాడు, అధ్యక్షుడు ఊళ్లో లేడు. ఆ తొమ్మిది లక్షలు ఏ ఖాతాలో పడ్డాయో తెలియాలంటే శాఖను మీరు అడగాల్సిన కాగితాలు రెండున్నాయి. అవేమిటో, రెండింట్లో ఏది ముందు అడగాలో, ఎందుకో రాసుకోండి. 5వ పాఠం ఆ రెండు కాగితాలతోనే మొదలవుతుంది.