పెట్ స్కాన్ చదవడం నేర్చుకుందాం – 4: జబ్బు కాని నలుపు

పెట్ స్కాన్ అంటే రోగికి రేడియోధార్మిక మందు (ట్రేసర్) ఎక్కించి, అది ఒంట్లో ఎక్కడ పోగుపడిందో బొమ్మ తీయడం. ముందుగా, పోయిన పాఠంలో అడిగిన లెక్కకు జవాబు. హైదరాబాద్ నుంచి విజయవాడ చేరేసరికి ట్రేసర్ శక్తి ఎంత మిగులుతుందన్నది ప్రశ్న. ట్రేసర్‌లోని రేడియోధార్మిక ఫ్లోరిన్-18 శక్తి ప్రతి 110 నిమిషాలకు సగమవుతుంది. హైదరాబాద్‌లో బయలుదేరిన ట్రేసర్ విజయవాడ చేరడానికి ఐదు గంటలు పట్టిందనుకుంటే, మిగిలేది సుమారు 15 శాతం. సగం మిగులుతుందని రాసినవారు కాగితం మీద మళ్లీ వేసి చూసుకోండి.

ఇక ఈ వారం విషయం, బొమ్మలో నల్లగా కనిపించినా జబ్బు కాని చోట్లు. ఎఫ్‌డీజీ అనే ఈ ట్రేసర్ గ్లూకోజ్ వేషంలో కణంలోకి దూరుతుందని, హెక్సోకైనేజ్ అనే ఎంజైము దానికి ఫాస్ఫేట్ తగిలించాక అక్కడే చిక్కుకుపోతుందని తెలుసుకున్నాం. గ్లూకోజ్ ఎక్కువగా లాక్కునే కణంలో ట్రేసర్ ఎక్కువగా పోగుపడుతుంది. అలా లాక్కునేది క్యాన్సర్ కణం ఒక్కటేనా? మెట్లెక్కిన కాలూ లాక్కుంటుంది, మాట్లాడిన గొంతూ లాక్కుంటుంది. అందుకే నా దగ్గర నేర్చుకునేవాళ్లకు ముందు కంప్యూటర్ తెర చూపించను. రోగి నింపిన ప్రశ్నల కాగితం ఇస్తాను. నిన్న ఏం చేశారు, పొద్దున ఏం తిన్నారు, ఏ మందులు వేసుకున్నారు, ఇన్సులిన్ తీసుకున్నారా, తీసుకుంటే ఎన్నింటికి? ఆ కాగితం చదవకుండా బొమ్మ చదివితే సగం తప్పులు అక్కడే మొదలవుతాయి.

ఇప్పుడు బొమ్మ తెరవండి. ఒళ్లంతా ఒకే చిత్రంగా కనిపిస్తూ గుండ్రంగా తిరిగేదాన్ని మిప్ అంటారు. తెల్లటి నేపథ్యం మీద, ట్రేసర్ ఎక్కువ పట్టిన చోటు నల్లగా ఉంటుంది.

పైన మెదడు కారునలుపు. ఉపవాసం ఉన్నా దానికి గ్లూకోజ్ కావలసిందే. ఆ నలుపులో చిన్న గడ్డ ఉన్నా కలిసిపోతుంది. మెదడులోకి క్యాన్సర్ పాకిందని అనుమానం ఉంటే ఎమ్మారై అడగాల్సింది అందుకే.

కిందికి వస్తే టాన్సిళ్లు, లాలాజల గ్రంథులు. రెండు వైపులా దాదాపు ఒకేలా ఉంటే సాధారణంగా కంగారు పడనక్కర్లేదు. ఒకవైపే నల్లగా ఉంటే ఆగి చూడాలి. ఈ సూత్రం బాగా పనిచేస్తుంది కానీ, స్వరపేటిక దగ్గర మనల్ని తలకిందులు చేస్తుంది. ట్రేసర్ సూది వేశాక సుమారు గంటసేపు మాట్లాడకుండా పడుకోమంటాం. మనవాళ్లతో అది అయ్యే పనేనా? సూది పడిందో లేదో ఊళ్లో ఉన్న పెదనాన్న దగ్గర్నుంచి ఫోను వస్తుంది. మాట్లాడితే స్వరతంత్రులు రెండూ నల్లబడతాయి, అది మామూలే. ఒక్క కుడివైపే నల్లబడిందనుకోండి. కొత్తవాళ్లు కుడివైపు గడ్డ ఉందేమోనని రాసేస్తారు. నిజానికి పడిపోయింది ఎడమ తంత్రి కావచ్చు. పనిచేసేది కుడిది ఒక్కటే కాబట్టి అదే నల్లగా ఉంది. ఎడమ తంత్రికి వెళ్లే నరం ఛాతీలోకి దిగి, బృహద్ధమని వంపు కింది నుంచి తిరిగి పైకొస్తుంది. అక్కడి లింఫ్ గ్రంథులు ఉబ్బి దాన్ని దెబ్బతీశాయేమో చూడండి. ఇక్కడ తెల్లగా ఉన్నదే అసలు కథ చెబుతోంది.

గుండెను నమ్మి ఏ నిర్ణయానికీ రావద్దు. కడుపు ఖాళీగా ఉంటే అది కొవ్వు ఆమ్లాలతో నడుస్తుంది, బొమ్మలో మసకగా ఉంటుంది. ఆకలికి ఆగలేక రెండు ఇడ్లీలు తిని వస్తే ఇన్సులిన్ పెరిగి గ్లూకోజ్ వైపు మళ్లుతుంది, ఎడమ జఠరిక గుర్రపు నాడాలా నల్లగా కనిపిస్తుంది. రెండూ సాధారణమే. చెప్పినట్టు ఉపవాసం ఉన్నవాళ్లలోనూ కొందరికి నల్లగానే వస్తుంది.

కాలేయం ఒక మోస్తరు బూడిద రంగులో, అంతటా ఒకేలా ఉంటుంది. అది మన కొలబద్ద. లింఫోమాలో (లింఫ్ గ్రంథుల క్యాన్సర్‌లో) మందు పనిచేసిందో లేదో తేల్చడానికి వాడే డోవిల్ అయిదంచెల కొలత కూడా ఛాతీ మధ్యలోని రక్తనాళాలతో, కాలేయంతో పోల్చి చూసేదే. ప్లీహం మామూలుగా కాలేయాన్ని మించి నల్లగా ఉండదు. ప్లీహం, దానితోపాటు ఎముకల మజ్జ అంతా ఒకేలా నల్లబడితే, కీమో మధ్యలో తెల్లకణాలు పెరగడానికి సూదులు వేశారేమో అడగండి.

ఇక నేను తలవంచుకున్న చోటు. మూత్రపిండాలు మామూలు గ్లూకోజును వడకట్టి తిరిగి రక్తంలోకి లాక్కుంటాయి. ఎఫ్‌డీజీని అంతగా లాక్కోలేవు. అది మూత్రంలోకి పోతుంది, మూత్రాశయం నల్లగా నిండుతుంది. మధ్యలో మూత్రనాళం ఉంది. ప్రకాశం బ్యారేజీ నుంచి కాలువకు నీళ్లు వదిలితే గట్టు పొడవునా పారతాయి. మూత్రనాళం అలా కాదు, వంతులవారీగా పిండుకుంటూ వదులుతుంది. అందుకే గీతలా కాకుండా అక్కడో చుక్క, ఇక్కడో చుక్క కనిపిస్తుంది. చేరిన కొత్తలో అలాంటి చుక్కను పట్టుకుని లింఫ్ గ్రంథి అన్నాను. మా పెద్ద డాక్టరు గారు ఏమీ అనకుండా మౌస్ పట్టుకుని, పెట్‌తో పాటే తీసిన సీటీ ముక్కలు ఒక్కొక్కటే పైకీ కిందికీ జరిపారు. చుక్క నాళం దారిలోనే ఉంది. మీరూ అలా జరిపి చూడండి. ఇంకా తేలకపోతే మూత్ర విసర్జన చేయించి, కొంతసేపటి తర్వాత ఆ భాగం వరకు మళ్లీ బొమ్మ తీస్తారు.

పేగులు మెట్‌ఫార్మిన్ అనే షుగరు మాత్ర వాడేవారిలో పొడవునా నల్లబడతాయి. అందుకే చాలా చోట్ల వైద్యుల సలహాతో 48 గంటల ముందు ఆ మాత్ర ఆపిస్తారు. పేగులో ఒక్కచోటే గట్టి చుక్క కనిపిస్తే మాత్రం మాత్ర మీదకు నెట్టేయకండి. పాలిప్ (పేగు లోపలి గోడ మీద పెరిగిన చిన్న కండ) కావచ్చు, కొలనోస్కోపీ, అంటే గొట్టంతో పెద్దపేగు లోపల చూసే పరీక్ష అవసరమవుతుంది.

కండరాల సంగతికి ఇంద్రకీలాద్రి చాలు. స్కాన్ బాగా రావాలని ముందురోజు అమ్మవారికి మొక్కుకుని మెట్లన్నీ నడిచి ఎక్కుతారు. మర్నాడు పిరుదుల, తొడల కండరాలు రెండు వైపులా నల్లగా కనిపించవచ్చు. మామూలు స్కాన్ తొడల మధ్య వరకే కాబట్టి పిక్కలు బతికిపోతాయి! ఒక్కరోజు ముందు నుంచి శ్రమ వద్దని చెప్పేటప్పుడు కొండ మెట్ల పేరు కూడా ఎత్తండి. వ్యాయామం వద్దంటే గుడి మెట్లు అందులోకి రావనుకుంటారు.

చివరిది గోధుమ కొవ్వు. చలికి ఒంట్లో వేడి పుట్టించేది ఇదే. మెడకు రెండు పక్కలా, కాలర్ ఎముకల పైన, వెన్ను పక్కన నల్లగా కనిపిస్తుంది. బయట రోహిణి కార్తె ఎండ మండిపోతున్నా, ఏసీ గదిలో పలుచటి గౌనుతో గంటసేపు పడుకుంటే చలేస్తుంది. సన్నగా ఉన్న యువతులలో మరీ ఎక్కువ. సీటీలో అదే చోట కొవ్వు తప్ప గ్రంథి లేదంటే అర్థమైపోతుంది. దుప్పటి సూది వేయకముందే ఇవ్వాలి, బొమ్మ తీసేటప్పుడు ఇస్తే లాభం లేదు.

వచ్చే పాఠానికి అభ్యాసం. గుంటూరు నుంచి వచ్చిన 58 ఏళ్ల ఆవిడకు ఊపిరితిత్తిలో చిన్న గడ్డ ఉంది. ఉదయం 7 గంటలకు ఇన్సులిన్ తీసుకున్నారు, 8 గంటలకు ట్రేసర్ ఎక్కించారు. బొమ్మలో ఒంట్లోని కండరాలన్నీ నల్లగా, గుండె నల్లగా ఉన్నాయి. కాలేయం వెలవెలబోయింది, గడ్డ లేతగా ఉంది. గడ్డ లేతగా ఉంది కాబట్టి ప్రమాదం లేదని అనవచ్చా? ఈ బొమ్మలో కాలేయం ఇంకా కొలబద్దగా పనికొస్తుందా?