సమ్మర్ క్యాంప్ పిల్లలకు ఇంట్లో చేసే ట్రెయిల్ మిక్స్: మన ఎండకు తట్టుకునే పద్ధతి

వేయించిన పప్పులు, గింజలు, ఎండు పళ్లు కలిపి కొండలెక్కేవాళ్లు సంచిలో వేసుకునే తిండిని ట్రెయిల్ మిక్స్ అంటారు. చలి దేశాల్లో అందులో చాక్లెట్ ముక్కలు కూడా కలుపుతారు. మన దగ్గర అది కుదరదు. చాక్లెట్ 34 డిగ్రీల దగ్గరే కరిగిపోతుంది. మే నెలలో విజయవాడలో, గుంటూరులో ఎండ 40 దాటుతుంది, బ్యాగు లోపల ఇంకా ఎక్కువ. దానికి తోడు కృష్ణ ఒడ్డున గాలిలో చెమ్మ. కాబట్టి ఏ పప్పు ఎంత బలం అన్నది తర్వాత సంగతి, ఏది కరగదు, ఏది మెత్తబడదు, ఏది కంపు కొట్టదు అన్నదే ముందు చూసుకోవాలి.

కింద చెప్పిన కొలతకు కిలో మిక్స్ వస్తుంది. పొట్లానికి 40 గ్రాముల చొప్పున 25 పొట్లాలు కట్టుకోవచ్చు.

వేరుశనగ గుళ్ళు 250 గ్రాములు
పుట్నాల పప్పు 200
జీడిపప్పు 100
బాదం 75
గుమ్మడి గింజల పప్పు 50
పుచ్చ గింజల పప్పు 50
జొన్న పేలాలు 50
ఎండు కొబ్బరి 50
కిస్‌మిస్ 100
ఎండు ఖర్జూరం, గింజ తీశాక 75

ఒక్కో పొట్లంలో సుమారు 190 కేలరీలు, 7 గ్రాముల మాంసకృత్తులు ఉంటాయి. సరుకు విజయవాడ వన్‌టౌన్‌లోనో, గుంటూరు పట్నం బజారులోనో తీసుకుంటే జీడిపప్పు గుండు బదులు బద్ద అడగండి. రుచి అదే, ధర తక్కువ, పైగా పిల్లల నోటికి సరిపడే ముక్క.

వేరుశనగ గుళ్ళను పళ్లెంలో పోసి ఓపిగ్గా ఏరండి. ముడతలు పడ్డవి, నల్లబడ్డవి, బూజు పట్టినవి పక్కన పడేయాలి. అలాంటి గింజల్లో అఫ్లటాక్సిన్ అనే విషం ఉండే అవకాశం ఎక్కువ, అది వేయించినా పూర్తిగా పోదు. పిల్లలు రోజూ తినేదాంట్లో ఈ ఒక్క పనికి బద్ధకించకూడదు.

వేయించడం

అన్నీ ఒకేసారి బాణలిలో పోస్తే గుమ్మడి గింజలు మాడేసరికి వేరుశనగ గుళ్ళు ఇంకా పచ్చిగానే ఉంటాయి. విడివిడిగా వేయించాలి. మందపాటి బాణలి, సన్న సెగ, నూనె చుక్క కూడా వద్దు. నూనె తగిలితే మిక్స్ త్వరగా ముక్కిపోతుంది, చేతులూ బట్టలూ జిడ్డవుతాయి.

గుళ్ళకు 10 నుంచి 12 నిమిషాలు పడుతుంది. పొట్టు చిట్లి, ఒక గింజ నలిపితే పొట్టు ఊడి రావాలి. చెంచాడు ఉప్పును రెండు పెద్ద చెంచాల నీళ్లలో కరిగించి పెట్టుకోండి. గుళ్ళు సగం వేగాక ఆ నీళ్లు చిలకరించి, తడి పూర్తిగా ఆరేదాకా కలుపుతూ వేయించండి. ఉప్పు గింజకు పట్టుకుంటుంది. పొడి ఉప్పు చల్లితే అదంతా పొట్లం అడుక్కి చేరుతుంది. మొత్తం మిక్స్‌కి ఈ ఉప్పే చాలు. రంగు మీరు కోరుకున్నదానికి కాస్త తక్కువగా ఉన్నప్పుడే దించేయండి, బాణలి వేడికి గింజ దించాక కూడా వేగుతూనే ఉంటుంది.

బాదం 6, 7 నిమిషాలు. ఇళ్లలో పొద్దున్నే నానబెట్టిన బాదం పెట్టడం అలవాటు, అది ఇంట్లో తినడానికే మంచిది. నానిన బాదం ఒకటి పొట్లంలో పడినా దాని తడి మిగతావాటికి పట్టి, మధ్యాహ్నానికి పులుపు వాసన మొదలవుతుంది. జీడిపప్పు 4 నిమిషాలు, లేత బంగారు రంగు చాలు. గుమ్మడి గింజలు 3 నిమిషాల్లో ఉబ్బి చిటపటలాడతాయి, పుచ్చ గింజలకు రెండు నిమిషాలు చాలు. పుట్నాలు ముందే వేగినవి కనుక చెమ్మ పోయేలా రెండు నిమిషాలు వేడి చేస్తే సరి. ఎండు కొబ్బరిని పల్చగా తరిగి, అంచులు రంగు మారగానే దించాలి. తరిగేముందు చిప్ప లోపలివైపు వాసన చూడండి. ఏ మాత్రం ముక్కిన నూనె వాసన వచ్చినా వాడొద్దు. ఆ ఒక్క ముక్క వాసన మొత్తం డబ్బాకు పడుతుంది.

పేలాలు తొలి ఏకాదశి రోజుల్లో ఎక్కడైనా దొరుకుతాయి కానీ వేసవిలో చాలాచోట్ల ఉండవు. ఇంట్లో చేసుకోవాలంటే జొన్నలపై గోరువెచ్చటి నీళ్లు చిలకరించి రాత్రంతా మూతపెట్టి ఉంచండి. పొద్దున నీడన పైతడి ఆరనిచ్చి, బాగా కాలిన బాణలిలో గుప్పెడు గుప్పెడు చొప్పున పెద్ద సెగ మీద వేయించండి. పేలని గింజలు పంటికి దెబ్బ. పెద్ద కళ్ల జల్లెడలో వేసి కదిపితే అవి కిందికి దిగిపోతాయి, పేలాలు పైన నిలుస్తాయి. 50 గ్రాముల పేలాలకు 80 గ్రాముల జొన్నలు తీసుకోండి. అంత తీరిక లేకపోతే మరమరాలు వేడి చేసి వాడొచ్చు.

వేగినవన్నీ వెడల్పాటి స్టీలు పళ్లేలలో ఫ్యాన్ కింద ఆరబెట్టండి. పాత పేపర్ల మీద పోయకండి, వేడికి సిరా తిండికి అంటుతుంది. ఇక్కడ జరిగే పొరపాట్లు రెండు. గోరువెచ్చగా ఉండగానే డబ్బాలో పోస్తే ఆవిరి మూతకు పట్టి నీరై కిందికి దిగుతుంది, రెండో రోజుకే అంతా మెత్తబడుతుంది. అలాగని రాత్రంతా పళ్లెంలో వదిలేస్తే గాలిలోని చెమ్మ లాగేసుకుంటుంది. ముప్పావు గంట, మించితే గంట. చేత్తో తాకితే చల్లగా అనిపించగానే మూత బిగించాలి.

తీపి వేరే పొట్లంలో

కిస్‌మిస్‌లో 15 శాతం దాకా నీరుంటుంది, పేలాల్లో ఏమంత ఉండదు. రెండూ ఒకే కవర్లో ఉంటే ఆ నీరు మెల్లగా పేలాలకు చేరుతుంది. పేలాలు సాగుతాయి, కిస్‌మిస్ గట్టిపడుతుంది. అందుకే కిస్‌మిస్, ఖర్జూరం కలిపి 7 గ్రాములు బటర్ పేపర్లో చిన్న పొట్లం కట్టి, 33 గ్రాముల పొడి మిక్స్ పొట్లంలో పైన పెట్టండి. తినేటప్పుడు పిల్లలే కలుపుకుంటారు, ఆ పని వాళ్లకు సరదా కూడా.

మెత్తటి ఖర్జూరం ఎండకు జిగురవుతుంది. గట్టి ఎండు ఖర్జూరమే కొనండి. కత్తికి లొంగదు కాబట్టి అడకత్తెరతో పల్చగా, శనగబద్దంత ముక్కలు చేయాలి. పెద్ద ముక్కలు పిల్లలు నమలలేక ఉమ్మేస్తారు. మామిడి తాండ్ర అడిగే పిల్లలు ఉంటారు. చిన్న ముక్కలు కోసి, పుట్నాల పప్పు మిక్సీ పట్టిన పొడిలో దొర్లిస్తే ఒకదానికొకటి అంటుకోవు. బెల్లం తురుము మాత్రం కలపొద్దు, గాలి తగిలితే చెమర్చి మొత్తం ముద్ద చేస్తుంది.

గుంటూరు ఇంట్లో ఏదైనా వేయించాక చెయ్యి కారం డబ్బా వైపు వెళ్తుంది. ఇందులో వద్దు. నూనె లేనందువల్ల కారం గింజకు పట్టదు, అడుగున చేరి చివరి గుప్పెడంతా మంటవుతుంది. ఆ వేళ్లతోనే పిల్లలు చెమట పట్టిన కళ్లు తుడుచుకుంటారు.

డబ్బాలోంచి గరిటెతో తీసి పొట్లాలు నింపితే మొదటివాటికి పేలాలు, చివరివాటికి జీడిపప్పు వెళ్తాయి. బరువున్నవి అడుక్కి దిగడమే దీనికి కారణం. వంటింటి త్రాసు ఉంటే పొట్లానికి గుళ్ళు 10, పుట్నాలు 8, జీడిపప్పు 4, బాదం 3, గింజలు రెండూ కలిపి 4, పేలాలు 2, కొబ్బరి 2 గ్రాములుగా పోయండి. త్రాసు లేకపోతే పెద్ద బేసిన్‌లో అన్నీ వేసి, తీసిన ప్రతిసారీ అడుగు నుంచి కలపండి. జిప్ కవర్లోంచి గాలి నొక్కేసి మూయాలి. పొట్లాలన్నీ గట్టి మూత స్టీలు డబ్బాలో ఉంచితే పది రోజులు కమ్మగా ఉంటాయి. కొబ్బరి మానేస్తే రెండు వారాలు. ఫ్రిజ్‌లో పెట్టినట్లయితే బయటికి తీసిన వెంటనే విప్పకండి. మూసిన పొట్లం మామూలు వేడికి వచ్చాకే విప్పాలి, లేదంటే లోపల తడి చేరుతుంది.

ఎవరికి ఎంత, ఎప్పుడు

5 నుంచి 8 ఏళ్ల పిల్లలకు 25 గ్రాములు, 12 ఏళ్ల దాకా 40, అంతకు పెద్దవాళ్లకు రోజంతా ఆటలుంటే 60. పొద్దున ఆరింటికే స్టేడియంలో ఉండాల్సిన పిల్లలు ఖాళీ కడుపుతో పరిగెత్తకుండా, అరగంట ముందు తీపి పొట్లం తినిపించండి. పప్పులు ఆట అయ్యాక తినాలి. అరగడానికి సమయం పట్టే పప్పులు ముందే తింటే పరుగులో కడుపు బరువెక్కుతుంది. ఉప్పుంది కాబట్టి తోడుగా నీళ్లు తప్పనిసరి, మజ్జిగైతే ఇంకా మంచిది.

కొండపల్లి కోటకో, కొండవీడుకో తీసుకెళ్లే రోజున ఎక్కుతూ తిననివ్వకండి. ఒకచోట కూర్చుని, నోట్లో ఉన్నది మింగాకే మాట్లాడాలి. గింజ గొంతుకు అడ్డం పడేది ఎక్కువగా పరుగులో, నవ్వులో. ఐదేళ్ల లోపు పిల్లలకు గింజలు ముక్కలుగా కూడా పెట్టొద్దు, పొడి కొట్టి ఉండలు చేసి పెట్టండి. కోతులు తిరిగే చోట పొట్లం చేతిలో పట్టుకోకుండా డబ్బా బ్యాగులోనే ఉంచమని చెప్పండి.

క్యాంపులో పిల్లలు తిండి పంచుకుంటారు కాబట్టి వేరుశనగ, జీడిపప్పు, బాదం పడని పిల్లలు ఎవరైనా ఉన్నారా అని నిర్వాహకులను ముందే అడగండి. వేరుశనగ పడని పిల్లలుంటే గుళ్ళు తీసేసి పుట్నాలు 150, గుమ్మడి, పుచ్చ గింజలు రెండూ కలిపి 100 గ్రాములు పెంచండి. బాణలి, గరిటె బాగా తోమాకే వాడాలి. విడిగా అమ్మే పుట్నాల్లో పక్క బస్తాలోని గుళ్ళు కలిసే వీలుంది, సీల్ చేసిన ప్యాకెట్ కొనండి. తిన్నాక పెదాలు వాచినా, ఒంటి మీద దద్దుర్లు లేచినా, ఊపిరి ఆడకపోయినా ఆగకుండా 108కి ఫోన్ చేయాలి.

క్యాంపు అయ్యాక మిగిలిన పొడి మిక్స్‌ను వాసన చూసి, బాగుంటే బాణలిలో రెండు నిమిషాలు వేడి చేసి చల్లార్చండి. దాని బరువులో సగం బెల్లంతో మిక్సీలో ఆపి ఆపి తిప్పి, చెంచాడు నెయ్యితో ఉండలు కట్టి వారంలోపు తినేయండి.